ఖురూజ్ నుండి జాగీరు వఱకు: తొలి ఇస్లాము తిరుగుబాటు శాఖలును మణికొండ దర్గాయును

హైదరాబాదునకు పడమట, షేక్‌పేట దాటి గచ్చిబౌలికి పోవు మార్గమున, అద్దపు గోడల సాఫ్టువేరు సౌధముల నడుమ హజ్రత్ హుసేన్ షా వలీ దర్గా కలదు. మణికొండ యను పల్లెపేరు అపార్టుమెంటుల ఫలకములపై నెక్కి నేటికిని బ్రదికియున్నది. ఆ వలీ పదునాఱవ శతాబ్దివాడు. గుల్బర్గాలో వెలసిన ఖ్వాజా బందానవాజ్ గేసూదరాజ్ వంశీయుడు. మన కవులు మల్కిభరాముడని కొనియాడిన ఇబ్రహీం కుతుబ్‌షా యేలుబడిలో, 1562 ప్రాంతమున, నగరమునకు తలమానికమైన హుసేన్ సాగరమును కట్టించిన పర్యవేక్షకుడు. ప్రభువు పేరు పెట్టవలసిన చెఱువునకు జనులు వలీ పేరే పెట్టుకొనిరని ఐతిహ్యము. 2022 ఫిబ్రవరి 7న సర్వోన్నత న్యాయస్థానము తీర్పు చెప్పిన మణికొండ భూవివాదము ఈ దర్గాకు సంబంధించినదే: 1654 ఎకరముల 32 గుంటల నేల, దానిపై లేచిన కార్యాలయములు, నివాసగోపురములు.

చెఱువునకును దర్గాకును హుసేన్ అను పేరు సమానము. ఆ పేరు క్రీ.శ. 680 అక్టోబరు 10న, హిజ్రీ 61 ముహర్రము దశమినాడు, యూఫ్రటీసు నదికి చేరువనున్న కర్బలా మైదానమున కొలదిమంది పరివారముతో హతుడైన ప్రవక్త దౌహిత్రునిది. ఆనాటి డమాస్కసు ప్రభుత్వము దృష్టిలో అతడు తిరుగుబాటుదారు. అట్టి పేరు తొమ్మిది శతాబ్దుల పిమ్మట తెలుగునేలపై చెఱువై, దర్గాయై, జాగీరై నిలువగా, అదే కాలమున అదే ప్రభుత్వముపై ఇంతకంటె తీవ్రముగా ఖడ్గమెత్తిన ఇతర శాఖలకు ఇచట గుఱుతైనను మిగులకపోవుటకు కారణమేమి? ఈ వ్యాసమునకు విషయమిదియే.

తిరుగుబాటు అను మాట పాలకుని నిఘంటువులోనిది. అరబ్బీలో దీనికి వాడు ‘ఖురూజ్’ అను పదమునకు బయలుదేఱుట యని మాత్రమే యర్థము. ఆ ధాతువునుండియే ఖారిజీలన్న పేరు పుట్టినది. 657లో సిఫ్ఫీన్ యుద్ధమున ఖలీఫా అలీ సైన్యమునకు జయము సమీపించినదనుకొనుచున్న వేళ, సిరియా పాలకుడు ముఆవియా పక్షమువారు ఈటెల కొనలకు ఖురాను పత్రములు కట్టి మధ్యవర్తిత్వము కోరిరి. అలీ అందులకు సమ్మతించెను. అంతట అతని సేనలోని ఒక వర్గము, తీర్పు దేవునిదే గాని మనుష్యులది కాదని కేకలు వైచి, కూఫా చెంతనున్న హరూరా గ్రామమునకు తొలగిపోయెను. మఱుసటి యేట నహ్రవాన్ వద్ద అలీయే వారిని సంహరింపవలసివచ్చెను. 661లో కూఫా మసీదున అలీపై విషపుకత్తి దూసిన ఇబ్న్ ముల్జం ఆ వర్గమువాడే.

ఈ ఖారిజీలను కేవలము ఉన్మాదులుగా చిత్రించుట పరిపాటియైనది; అది న్యాయము కాదని నా యభిప్రాయము. వారి క్రౌర్యము నిజమే. ముఖ్యముగా 685లో మరణించిన నాఫి ఇబ్న్ అల్ అజ్రక్ అనుచరులైన అజ్రకీలు తమతో చేరని ముస్లిములను సైతము వధ్యులుగా నెంచిరి. అయినను, పాపము చేసిన పాలకుడు పదభ్రష్టుడగుననియు, ధర్మపరుడైనచో హబషీ బానిసయైనను ఇమాము కావచ్చుననియు వారు చేసిన ప్రతిపాదనము, కురైషు తెగవారికే నాయకత్వము చెల్లునను ఆనాటి సామాన్య విశ్వాసమునకు గొడ్డలిపెట్టు. రక్తసంబంధమునకు రాజ్యముతో సంబంధము లేదని యేడవ శతాబ్దిలో నింత సూటిగా చెప్పినవారు అరుదు. అజ్రకీల తుది నాయకుడు ఖతరీ ఇబ్నుల్ ఫుజాఆ కవియు, యోధుడును. ఇతడు ఇరాను ప్రాంతమున వెండి దిర్హములు ముద్రించెను. సస్సానీ చక్రవర్తి ముఖచిత్రముతో, పహ్లవీ లిపిలో ఖతరీ పేరుతో, అంచున తీర్పు దేవునిదేయను అరబ్బీ నినాదముతో నున్న ఆ నాణెములు నేటికిని నిలిచియున్నవి. రాజులను నిరాకరించినవాడు రాజముఖము గల నాణెము కొట్టించుటలోని వింతను చరిత్రకారుడు చూచి నవ్వుకొనవచ్చును. సైనికులకు జీతమియ్యవలసినవాడు నవ్వడు.

ఈ కథలను మూలమునుండి చదువగోరువారు దూరదేశములకు పోనక్కఱలేదు. 1888లో స్థాపితమై నేడు ఉస్మానియా విశ్వవిద్యాలయ ప్రాంగణమున నున్న దాయిరతుల్ మఆరిఫ్ సంస్థ, ఇబ్న్ ఆసం అల్ కూఫీ రచించిన కితాబుల్ ఫుతూహ్ గ్రంథమును 1968 మొదలు 1975 వఱకు ఎనిమిది సంపుటములలో ప్రకటించినది. సిఫ్ఫీనును, కర్బలాను విస్తరించి చెప్పు ఆ ప్రాచీన గ్రంథమును ప్రపంచమందలి పండితులు హైదరాబాదు ముద్రణము పేరనే పేర్కొందురు.

కర్బలా పిమ్మటి కూఫా చరిత్రము మన విచారమునకు మిక్కిలి అవసరము. హుసేనును ఆహ్వానించి ఆపదలో విడిచితిమని పశ్చాత్తపించినవారు 685 ఆరంభమున సులైమాన్ ఇబ్న్ సురద్ నాయకత్వమున పోయి ప్రాణములర్పించిరి. ఆ సంవత్సరముననే కూఫాను వశపఱచుకొన్న ముఖ్తార్ మాత్రము పశ్చాత్తాపముతో తృప్తి చెందు రకము కాడు. అలీ కుమారుడును, హుసేనునకు సవతి సోదరుడునగు ముహమ్మద్ ఇబ్నుల్ హనఫియ్యా పేరిట, అతనిని రానున్న మార్గదర్శియగు మహదీయని ప్రకటించుచు, హుసేన్ హంతకులను వెదకి వధించెను. అరబ్బులు కాని నవముస్లిములగు మవాలీలను గుఱ్ఱములెక్కించి, వారికిని కొల్లసొమ్మున పాలిచ్చెను. తమ దాసులను తమకు సమానులను చేసెనని కూఫా పెద్దలకు కలిగిన కోపము, సిద్ధాంతభేదముకంటె పదిరెట్లధికమైనది. 687లో ముసఅబ్ ఇబ్న్ జుబైర్ సేనలచే ముఖ్తార్ హతుడయ్యెను.

ముఖ్తార్ కథలో ఒక చిన్న విషయము తబరీ చరిత్రయందు కలదు: అలీ కూర్చుండిన దని చెప్పబడిన ఒక పీఠమును వస్త్రములతో నలంకరించి, కంచరగాడిదపై నెక్కించి, ఆతని యనుచరులు యుద్ధమునకు కొనిపోయిరి. చూచినవారిలో కొందఱు పరిహసించిరి, కొందఱు చేతులెత్తి ప్రార్థించిరి. దట్టీలు కట్టిన పీరును చేతబట్టి గుండము చుట్టు తిరుగు మన పల్లె ముజావరు ఈ ఘట్టమును చదివినచో ఆశ్చర్యపడడు. ఆ పీఠమునుండి ఈ పీరు వచ్చినదని నేననుట లేదు. అట్టి పరంపరకు ఆధారము లేదు. వంశమును మోయలేని జనులు వంశచిహ్నమును మోయుదురను సామ్యమునే చూపుచున్నాను.

ఆ తరువాతి ఘట్టములను వేగముగా దాటవచ్చును. 740లో హుసేన్ పౌత్రుడు జైద్ కూఫాలోనే లేచి కూలెను. 747లో ఖురాసానున అబూ ముస్లిం నల్లజెండా లెత్తి, ప్రవక్త కుటుంబములో నెల్లరకు సమ్మతుడైనవాని కొఱకని, పేరు చెప్పకయే జనులను కూడగట్టెను. 750 నాటికి డమాస్కసునందలి ఉమయ్యా రాజ్యము కూలి సింహాసనము అబ్బాసీలకు దక్కెను. విజయము పొందిన తిరుగుబాటు తన సోదర శాఖలను అణచుటలో పాతవారికి తీసిపోలేదు. పదియవ శతాబ్దిలో ఇస్మాయిలీ షియాలలో ఒక శాఖయగు ఖర్మతీలు మక్కానుండి నల్లఱాతిని గొనిపోయి ఇరువది సంవత్సరములకు పైగా నుంచుకొనిరి. 1090లో హసన్ సబ్బాహ్ అలమూత్ దుర్గమును పట్టి నిజారీ ఇస్మాయిలీలకు ఆశ్రయము కల్పించెను. 1256లో మంగోలులు దానిని నేలమట్టము చేసిరి.

అలమూత్ కూలినను దాని వంశము కూలలేదు. దానియందొక శాఖకు ఇమామైన షా తాహిర్, ఇరానున సఫవీ ప్రభువు ఆగ్రహమునకు వెఱచి దక్కనునకు వచ్చి, 1522లో అహ్మద్‌నగరమున స్థిరపడెను. తన యిస్మాయిలీ పదవిని మఱుగుపఱచి పండ్రెండుగురు ఇమాముల షియా మతమును బోధించి, 1537లో బుర్హాన్ నిజాంషాచే దానినే రాజమతముగా ప్రకటింపజేసెను. అప్పటికే గోలకొండలో, హమదాన్ ప్రాంతపు కరాకోయున్లు తురుష్కవంశమునుండి వచ్చిన సుల్తాన్ కులీ ఆ మతమునే స్వీకరించియుండెను. వేఱొక నిజారీ శాఖకు చెందిన ఆగాఖానుల విద్యాలయము నేడు మహేశ్వరమున, హార్డువేరు పార్కునొద్ద, 2011 నుండి నడచుచున్నది. కొండకోటలోని తిరుగుబాటుదారుల వారసులు సాంకేతికనగరపు శివారున బడి కట్టుట చరిత్రలో వింత గాదు. వంశము అవిచ్ఛిన్నముగా నుండుటయే అందులకు మూలము.

ఇచట నా వాదము స్పష్టమగును. దక్కనునకు నడచివచ్చినది సిద్ధాంతము గాదు, వంశము. హుసేన్ షా వలీ షియా గాడు. చిష్తీ సూఫీ పరంపరవాడు. గేసూదరాజ్ పేరు చివర నుండు ‘హుసేనీ’ యను బిరుదము శాఖాభేదములకు అతీతమైన చెల్లుబాటు గల హుండీవంటిది. ప్రవక్త వంశీయుడగు సయ్యదు ఎచటికేగినను అతనికి గౌరవము, గౌరవమునకు ఇనాము, ఇనామునకు ఫర్మానా, ఫర్మానాకు వారసులు. ఆ వెనుక దర్గా, ఉరుసు, వివాదము. రక్తమునకు విలువ లేదన్న ఖారిజీకి ఈ సోపానమున మొదటి మెట్టే లేదు. ధర్మపరుడైన బానిసకు ఇమామత్వము చెల్లునను సూత్రమును ఏ రాజు ఏ భూమికి దానపత్రముగా వ్రాసియిచ్చును?

దీనికి ప్రత్యుదాహరణము మన నగరముననే కలదు. దానిని దాచుట పరిశోధన గాదు. 1495లో మక్కాయందు తానే మహదీనని ప్రకటించి, 1505లో ఫరాహ్‌లో మరణించిన జౌన్‌పూరు సయ్యద్ ముహమ్మద్ అనుచరులగు మహదవీలు, ఆస్తిని త్యజించి, వచ్చినదానిని తమ ఆవాసములగు దాయిరాలలో సమముగా పంచుకొను నియమముతో జీవించినవారు. అట్టివారు చంచల్‌గూడలో తరతరములుగా నిలిచిరి. నిజాము కాలపు మహావక్త బహాదుర్ యార్ జంగ్ ఆ శాఖవాడే. పంపక నియమమున వీరు కూఫా మవాలీలకు దగ్గఱ. అయినను వీరి ప్రవర్తకుడును సయ్యదే.

పల్లెలలో ఈ కథ వేఱు రూపము దాల్చినది. 1590వ దశకమున ముహమ్మద్ కులీ కుతుబ్‌షా కట్టించిన బాద్‌షాహీ ఆషుర్‌ఖానాలో రంగుపలకల గోడల నడుమ నిలుపబడిన అలములు మూలమున యుద్ధధ్వజములే. అవి తెలంగాణపు టూళ్లలో పీర్లయినవి. పీర్ల కొట్టము ముందు గుండము త్రవ్వి నిప్పులు పోసి, అసోయ్ దూలా యని పాడుచు ఆడువారిలో ముస్లిములు కొలదిమందియే యుండవచ్చును; మలీద పంచుచోట కులమడుగరు. కర్బలానాటి డమాస్కసు పాలకుడు యజీదు ఎవరో, కూఫా ఎచటనో వారికి తెలియనక్కఱలేదు. దప్పికతో చచ్చిన బిడ్డ కథ చాలును. ఈ యాదరమునకు ఫర్మానా లేదు, ఎకరములు లేవు. నా వాదమునకు వంశమునందున్న బలమంతయు ఈ గుండమునొద్ద కొంత సడలునని యొప్పుకొందును.

మణికొండ వ్యాజ్యమున మాత్రము ఎకరములే ప్రధానము. 2006లో వక్ఫ్ బోర్డు సవరణ ప్రకటనము ద్వారా ఆ భూమినంతయు దర్గా వక్ఫుగా చూపగా, 2012లో ఉన్నత న్యాయస్థానము అందులకు అనుకూలించెను. సర్వోన్నత న్యాయస్థానము దానిని త్రోసిపుచ్చి, హైదరాబాదు సంస్థానమున జాగీరులు రద్దయిన నాడే ఆ జాగీరు ప్రభుత్వపరమైనదని నిర్ణయించెను. దర్గా దర్గాగానే యున్నది. ఉరుసునాడు చాదరు తెచ్చు భక్తులు కార్యాలయపు బస్సుల వరుస దాటి లోనికి పోవుచున్నారు.

ఖారిజీలను పూర్తిగా విడుచుటకు ముందు చాంద్రాయణగుట్ట దాటి బార్కస్ వఱకు పోవలయును. బ్యారక్స్ అను మాటనుండి పేరు వచ్చిన ఆ పేటలో, నిజాము సైన్యమునకై హద్రమౌత్ నుండి వచ్చిన అరబ్బుల సంతతి వసించుచున్నది. ఖారిజీలలో మితవాదులైన ఇబాదీల ఇమాము తాలిబుల్ హక్ లేచినది ఆ హద్రమౌత్‌లోనే. 747లో అతని సేనలు మక్కాను, పిదప మదీనాను పట్టెను. ఉమయ్యాలు 748లో అతనిని వధించిరి. ఇబాదీలు అటుపిమ్మటను ఆ లోయలో చిరకాలము నిలిచిరి. పదియవ శతాబ్దిలో బస్రానుండి అహ్మద్ అల్ ముహాజిర్ అను హుసేనీ సయ్యదు అచటికి వలసవచ్చెను. కొన్ని తరములలో ఇబాదీలు కనుమఱుగై, ఆతని సంతతియగు సయ్యదుల సమాధులు యాత్రాస్థలములయ్యెను. బార్కస్‌కు వచ్చినవారు తమతో తెచ్చుకొన్నది షాఫియీ ధర్మశాస్త్రమును, ఆ సయ్యదులయెడ గౌరవమును.