కంపెనీ చెక్కులు – డైరెక్టరుల దండనము

వ్యాపారము చేయు కుటుంబములలో నొక యాచారము బలపడినది. కంపెనీ స్థాపించునపుడు డైరెక్టరుల సంఖ్య పూరించుటకై తమ్ముని పేరో, కోడలి పేరో, ఊరిలో మర్యాదగల పెద్దమనుష్యుని పేరో చేర్తురు. వారు కార్యాలయపు గడప త్రొక్కరు, లెక్కలు చూడరు. చూపినచోట చేవ్రాలు మాత్రము చేయుదురు. ఆ కంపెనీ యిచ్చిన చెక్కు సొమ్ములేదని బ్యాంకినుండి తిరిగివచ్చినపుడు మేజిస్ట్రేటు కోర్టు సమను వారి యింటికిని వచ్చును. అప్పుడు పుట్టు ప్రశ్న యొక్కటే: దండనము పేరునకా, పనికా? దీనికి సమాధానము ఒక్కనాట నేర్పడినది కాదు. ఆ చరిత్రము నిచ్చట సంగ్రహముగా వివరింపదలచితిమి.

మన ధర్మశాస్త్రకారులు ఋణాదానప్రకరణమున పూటకాపును గూర్చి సూక్ష్మముగా విచారించిరి. యాజ్ఞవల్క్యుడు ప్రతిభువులను మూడు తెగలుగా విభజించెను. ఋణికుని తెచ్చి చూపుదునని పూచీపడువాడు దర్శనప్రతిభువు. ఇతడు నమ్మదగినవాడని చెప్పువాడు ప్రత్యయప్రతిభువు. అతడీయనిచో నేనిత్తునని యొప్పుకొనువాడు దానప్రతిభువు. మొదటి యిరువురు మరణించినచో వారి పుత్రులు ఋణము తీర్పనక్కరలేదు. మూడవవాని పుత్రులు తీర్పవలయును. అనగా ఎవడెంత మాట యిచ్చెనో వాని వంశముపై నంతయే భారము. ఈ న్యాయమును పాఠకులు మనసున నుంచుకొందురుగాక.

భాగస్వాముల వ్యాపారమున బాధ్యు డెవడని వెదకవలసిన పని లేదు. 1906 అక్టోబరులో చెన్నపురియందు ఆర్బత్‌నాట్ కంపెనీ దివాలా తీసెను. పేరునకు కంపెనీయే గాని యది భాగస్వాముల వ్యాపారము. దాని ముఖ్యభాగస్వామి సర్ జార్జి ఆర్బత్‌నాట్ దొరకు నేరము రుజువై 18 నెలల కఠినశిక్ష పడెను. పరిమిత కంపెనీల సంగతి వేఱు. మన దేశమున 1857 నాటి చట్టము వాటాదారులకు పరిమితబాధ్యత ననుగ్రహించెను. 1896లో ఇంగ్లండునందలి ప్రభువులసభ, శాలమన్ వ్యాజ్యమున, కంపెనీ తన వాటాదారులకంటె వేఱగు వ్యక్తి యని తీర్మానించెను. ఆ వ్యక్తికి పేరు కలదు, ఆస్తి కలదు. చెఱసాలలో నుంచుటకు దేహము మాత్రము లేదు.

ప్రామిసరీనోట్లకు, బిల్లులకు, చెక్కులకు సంబంధించిన చట్టము 1881లో పుట్టి 1882 మార్చి 1 నుండి అమలులోనికి వచ్చెను. నూఱేండ్లకు పైగా దానియందు చెల్లని చెక్కునకు శిక్ష లేదు. సొమ్ము కావలసినవాడు సివిలు దావా వేయవలయును. లేదా 1860 నాటి శిక్షాస్మృతిలోని 420వ సెక్షను క్రింద, చెక్కిచ్చినవాడు మొదటినుండియు మోసగింప దలచెనని రుజువు చేయవలయును. మనసులోని తలంపును రుజువు చేయుట యెంత కష్టమో వేఱ చెప్పనేల?

చెక్కులపై జనులకు నమ్మకము పెంచుటకై 1988లో పార్లమెంటు 138 మొదలు 142 వఱకుగల సెక్షనులను చేర్చెను. అవి 1989 ఏప్రిలు 1 నుండి అమలయ్యెను. చెక్కు తిరిగివచ్చినంతనే నేరము పూర్తికాదు. తిరిగివచ్చెనని తెలిసిన 30 దినములలో నోటీసీయవలయును. నోటీసందిన 15 దినములలో సొమ్ము చెల్లింపనిచో నేరమగును. ఆపైని ఒక నెలలో ఫిర్యాదు దాఖలు చేయవలయును. మొదట నోటీసునకు 15 దినములే గడువు, శిక్ష గరిష్ఠముగా ఒక సంవత్సరము. 2002 నాటి సవరణచే గడువు 30 దినములు, శిక్ష రెండు సంవత్సరములు నయ్యెను. జరిమానా చెక్కుమొత్తమునకు రెట్టింపువఱకు విధింపవచ్చును.

కంపెనీ సంగతి 141వ సెక్షనునందు కలదు. నేరము జరిగిన కాలమున కంపెనీ వ్యవహారములను నడపుచు, వానికై కంపెనీకి జవాబుదారియైన ప్రతివాడును కంపెనీతోపాటు దోషియే. తనకు తెలియకుండ జరిగెననియో, నివారించుటకు తగిన జాగ్రత్త తీసికొంటిననియో రుజువు చేసికొన్నవాడు విముక్తుడగును. మఱియు నే డైరెక్టరుని సమ్మతిచేతగాని, కుమ్మక్కుచేతగాని, అజాగ్రత్తచేతగాని నేరము జరిగెనో వాడును దోషియే.

ఈ మాటలకు సరియైన యర్థము 2005లో హైదరాబాదునకు చెందిన ఎస్.ఎం.ఎస్. ఫార్మాస్యూటికల్స్ వారి వ్యాజ్యమున తేలెను. డైరెక్టరను పేరుమాత్రముచే నెవడును దోషి కాడనియు, అతడు వ్యవహారములు నడపుచుండెనని ఫిర్యాదునందే స్పష్టముగా వ్రాయవలయుననియు సుప్రీముకోర్టు చెప్పెను. మేనేజింగు డైరెక్టరును, జాయింటు మేనేజింగు డైరెక్టరును పదవీస్వభావముచేతనే బాధ్యులు. చెక్కుపై చేవ్రాలు చేసినవాడును తప్పించుకొనజాలడు. 2012లో గాడ్‌ఫాదర్ ట్రావెల్స్ వ్యాజ్యమున, కంపెనీని ముద్దాయిగా చేర్పక డైరెక్టరులను మాత్రమే విచారింపరాదని తీర్మానమయ్యెను. 2021లో షా బ్రదర్స్ ఇస్పాత్ వ్యాజ్యమున, 2016 నాటి దివాలాస్మృతి క్రింద కంపెనీకి మారటోరియము వచ్చినను, అది డైరెక్టరులను కాపాడదని తేలెను. యాజ్ఞవల్క్యుని మూడు తెగలును ఈ తీర్పులును ఒకటే యనము. కాని వేర్వేఱు పూచీలకు వేర్వేఱు భారము లను వివేకము రెంటియందును కలదు.

శాసన మింత స్పష్టమైనను బాధ తీరలేదు. 2019 డిసెంబరు 31 నాటికి దేశమున నిలిచియున్న 2 కోట్ల 31 లక్షల క్రిమినలు కేసులలో 35 లక్షల 16 వేలు చెక్కుల కేసులే. సరకిచ్చి చెక్కు పుచ్చుకొన్న చిన్న వర్తకుడు ఏండ్లతరబడి కోర్టుమెట్లెక్కును. ఏమియు నెఱుగని యింటియాడుబిడ్డ అదే కోర్టున ముద్దాయియై నిలుచును. ఇరువురును మనవారే కావచ్చును.

కావున సోదరులారా, మా విన్నపము రెండు మాటలు. ఫిర్యాదు చేయువారు కంపెనీ కాగితమునందున్న పేరులన్నియు నెత్తి వ్రాయక, పని నడపినవారెవరో విచారించి వ్రాయుడు. అందువలన వ్యాజ్యము నిలుచును, నిర్దోషులు నలుగరు. పేరీయబోవువారు లెక్కలు చూచు నధికారము లేనిచో నా పేరీయకుడు. విడిచిపోవువారు రాజీనామా కంపెనీల రిజిస్ట్రారువద్ద దాఖలగునట్లు చూచుకొనుడు. వ్రాయని చెక్కుపై చేవ్రాలు చేసి యొరులచేతి కీయకుడు. మంచిపేరు మన పెద్దలు కూడబెట్టిన ధనము. దానిని లెక్కచూడక యప్పిచ్చుట వర్తకధర్మము కాదు.