చేతి వీడియో గేమ్‌లలో రీసెట్, సేవ్ చెరిపివేత

చేతిలో పట్టుకొని ఆడే వీడియో గేమ్ విషయంలో “మళ్ళీ మొదలుపెట్టాను” అని ఎవరైనా అంటే రెండు అర్థాలు తీసుకోవచ్చు. ఆటను మధ్యలో ఆపి తిరిగి తెరవడం ఒకటి. చివరిసారి సేవ్ చేసిన చోటినుంచే ఆట అందుకుంటుంది, ఆ తరువాత జరిగింది మాత్రం పోతుంది. దీన్ని రీసెట్ అంటారు. సేవ్ చేసుకున్నదాన్నే పలక తుడిచినట్టు తుడిచి, కొత్త పేరు పెట్టుకుని, ఖాళీ చేతులతో బయల్దేరడం ఇంకొకటి. మొదటిది గంటకు పదిసార్లు చేసినా దాచుకున్నదేమీ పోదు. రెండోది ఒక్కసారి చేస్తే ఏళ్ళ తరబడి ఆడినదంతా గల్లంతు. ఈ తేడా తెలిసిన ఆట తయారీదార్లు మొదటిదాన్ని సులువు చేసి, రెండోదాన్ని కావాలనే కష్టం చేశారు. ఎంత కష్టమన్నది కాలాన్నిబట్టి, లోపలి చిప్‌నుబట్టి మారుతూ వచ్చింది.

దాచుకోవడానికి ఏమీ లేని రోజులు

జపాన్ సంస్థ నింటెండో 1980లో గుంపే యొకోయ్ రూపకల్పనలో ‘గేమ్ అండ్ వాచ్’ ఆటలను తెచ్చింది. ఒక్కో పరికరంలో దాదాపు ఒకే ఆట, పక్కన గడియారం. వీటిలో చాలా మోడళ్ళకు ఏసీఎల్ అనే చిన్న మీట ఉండేది. ‘ఆల్ క్లియర్’ అనే మాటకు పొట్టి రూపం అది. వేలికి అందకుండా లోపలికి ఉండేది కాబట్టి మొనదేలిన వస్తువుతో నొక్కాలి. నొక్కితే పరికరం కొత్తగా కొన్ననాటి స్థితికి వచ్చేస్తుంది.

1989 ఏప్రిల్ 21న జపాన్‌లో విడుదలైన గేమ్‌బాయ్‌లో ఆట కార్ట్రిడ్జ్ రూపంలో వచ్చింది. మన పిల్లలు క్యాసెట్ అన్నది దీన్నే. గేమ్‌బాయ్‌తోపాటు లోకమంతా తిరిగిన ‘టెట్రిస్’ కార్ట్రిడ్జ్‌లో స్కోరును దాచే ఏర్పాటే లేదు. స్విచ్ ఆపితే ఎంత పెద్ద స్కోరైనా ఆవిరే. తెలుగు ఇళ్ళలో గేమ్‌బాయ్ అరుదు. 1990లలో మన పిల్లల చేతికి ఎక్కువగా వచ్చింది ‘బ్రిక్ గేమ్’ అనే చవక పరికరం. దానిమీద ‘రీసెట్’ అని రాసిన బటన్ కూడా ఉండేది. అందులో సెల్లులు తీస్తే హై స్కోరు పోతుంది, కాబట్టి అన్నదమ్ముల పోటీలో సెల్లులు మార్చే పని ఎప్పుడూ అనుమానాస్పదమే.

1996 నవంబరులో బందాయ్ విడుదల చేసిన ‘టమగోచి’లో ఆటంటే ఒక పెంపుడు ప్రాణి. వెనకవైపు సన్నటి రంధ్రంలో రీసెట్ బటన్ ఉంటుంది, పెన్ను మొనతో నొక్కాలి. గుడ్డునుంచి మళ్ళీ మొదలవుతుంది. చెరిపివేతకు పదునైన వస్తువు కావాలన్న పద్ధతి ఏసీఎల్‌నుంచి ఇక్కడిదాకా అలాగే నడిచింది.

కాగితంమీద రాసుకున్న ప్రాణం

సేవ్ చిప్ ఖరీదు ఎక్కువైన రోజుల్లో ఆటలు పాస్‌వర్డ్‌తో పని నడిపాయి. 1986లో ఇంటి టీవీకి తగిలించే ఫామికామ్ కోసం వచ్చిన ‘డ్రాగన్ క్వెస్ట్’ ఆటగాడి స్థితినంతా 20 జపనీస్ అక్షరాల్లోకి కుదించి ఇచ్చేది. మరుసటి ఏడాది రెండో భాగంలో అది గరిష్ఠంగా 52 అక్షరాలైంది. ఒక్క అక్షరం తప్పు రాసుకుంటే ఆట అక్కడితో సరి. చేతి పరికరాల్లోనూ ఇదే దారి: గేమ్‌బాయ్‌లో 1991లో వచ్చిన ‘మెగా మ్యాన్’ ఆట పాస్‌వర్డ్ మీదే నడిచింది. ఈ పద్ధతిలో చెరపాల్సింది ఏదీ కార్ట్రిడ్జ్‌లో ఉండదు, కాగితం చింపితే చాలు. అదే కాగితం దాచుకున్నవాళ్ళకు పదేళ్ళ తరువాత కూడా ఆట ఉన్నచోటే ఉంటుంది. ఇంత గట్టి సేవ్‌ను తరువాతి యంత్రాలు ఇవ్వలేకపోయాయి.

బ్యాటరీ సేవ్ డ్రాగన్ క్వెస్ట్ మూడో భాగంతో 1988లో ఆ వరుసలోకి వచ్చింది. గేమ్‌బాయ్‌లో 1989 డిసెంబరులో వచ్చిన ‘మకాయ్ తోషి సాగా’, 1991 నాటి ‘మెట్రాయిడ్ 2’ అదే ఏర్పాటుతో వచ్చాయి. కార్ట్రిడ్జ్ లోపల స్టాటిక్ ర్యామ్ అనే చిప్, దానికి కరెంటు అందిస్తూ నాణెమంత సెల్ ఉంటాయి. కరెంటు ఉన్నంతకాలమే ఆ చిప్ గుర్తుంచుకుంటుంది. కాబట్టి గేమ్‌బాయ్ ఆపేసి బీరువాలో పడేసినా లోపలి సెల్ మాత్రం చుక్కచుక్కగా ఖర్చవుతూనే ఉంటుంది.

అసలు ప్రమాదం స్విచ్ ఆపే క్షణంలో ఉంది. వోల్టేజీ పడిపోతున్నప్పుడు ప్రాసెసర్ తిక్క రాతలు రాసే అవకాశం ఉంది, అవి సేవ్ చిప్‌లో పడితే దాచుకున్నది చెడిపోతుంది. అందుకే గేమ్‌బాయ్ కార్ట్రిడ్జ్‌లలో ర్యామ్‌కు ఒక తలుపులాంటిది పెట్టారు. కంట్రోలర్ చిప్‌కు 0ఏ అనే విలువ పంపితేనే అది తెరుచుకుంటుంది, పని కాగానే మళ్ళీ మూసేయాలి. ఆటలు “సేవ్ అవుతోంది, స్విచ్ ఆపొద్దు” అని బతిమాలుకునేది ఆ తలుపు తెరిచి ఉన్న కాసేపటి గురించే.

పోకెమాన్: ఒక కార్ట్రిడ్జ్, ఒక జీవితం

చెరిపివేత పిల్లల ఇళ్ళలో నిజమైన తగవుగా మారింది పోకెమాన్‌తో. గేమ్ ఫ్రీక్ సంస్థ తయారుచేసిన ‘రెడ్’, ‘గ్రీన్’ ఆటలు 1996 ఫిబ్రవరి 27న జపాన్‌లో వచ్చాయి. రూపకర్త సతోషి తజిరి. 151 రకాల జీవులను పట్టి పెంచి, కేబుల్‌తో మిత్రులతో మార్చుకునే ఆట ఇది. సేవ్ చిప్ 32 కిలోబైట్లు. అందులో ఒక్క ఆటగాడికే చోటు. తమ్ముడు ఆడాలంటే అన్న ఆట పోవాలి. మెట్రాయిడ్ 2లాంటి ఆటలు ముగ్గురికి మూడు గదులు ఇస్తుంటే, ఇక్కడ ఇల్లంతా ఒకే గది. కారణం అర్థమయ్యేదే: పెట్టెల్లో దాచిన వందలాది జీవుల వివరాలతో ఆ కాస్త చోటూ నిండిపోతుంది.

కొత్త ఆట ఎంచుకోగానే పాతది పోదు. ప్రాసెసర్ వాడుకునే తాత్కాలిక మెమరీలోనే కొత్తది నడుస్తుంది. సేవ్ నొక్కినప్పుడు మాత్రం ఆటగాడి నంబరు వేరుగా ఉందని ఆట గుర్తించి, పాత ఫైలు చెరిగిపోతుంది సరేనా అని అడుగుతుంది. ఆ ప్రశ్న చదవకుండా ‘ఏ’ బటన్ నొక్కే చేతులు పిల్లలకు సహజం.

అసలైన చెరిపివేతకు దారి వేరే ఉంది. మొదటి తెరమీద పైబాణం, సెలెక్ట్, బీ మూడూ కలిపి నొక్కిపట్టాలి. అప్పుడు సేవ్ అంతా తీసేయమంటారా అని ఆట అడుగుతుంది. ఈ కలయికను గేమ్‌బాయ్ చేతిలో పట్టుకొని చూస్తే తెలివి తెలుస్తుంది. పైబాణం ఎడమ బొటనవేలిది, బీ కుడి బొటనవేలిది, సెలెక్ట్ వాటికి దూరంగా కింద మధ్యలో ఉంటుంది. ఆ మూడూ జేబులో పొరపాటున కలిసి పడేవి కావు. ఒకరు చెబితేనే తెలిసే రహస్యం. ఆ మాట మోసుకొచ్చినవాళ్ళు స్కూల్లో కాస్త పెద్ద క్లాసు పిల్లలు, అన్నయ్యలు.

ఈ కలయిక చాలాకాలం నిలిచింది. 1999 నవంబరులో వచ్చిన ‘గోల్డ్’, ‘సిల్వర్’, గేమ్‌బాయ్ అడ్వాన్స్‌కు వచ్చిన ‘రూబీ’, ‘సఫైర్’ (2002), నింటెండో డీఎస్‌కు వచ్చిన ‘డైమండ్’, ‘పర్ల్’ (2006) అన్నిటిలోనూ అదే పైబాణం, సెలెక్ట్, బీ. డైమండ్ తరంనుంచి నిబంధన ఇంకా బిగిసింది. పాత సేవ్ ఉండగా కొత్త ఆట మొదలుపెట్టి ఆడవచ్చు గానీ దాన్ని దాచుకోనివ్వదు. ముందు చెరిపి రావాల్సిందే. 3డీఎస్‌లో వచ్చిన ‘ఎక్స్’, ‘వై’ (2013) నాటికి సెలెక్ట్ స్థానంలో ఎక్స్ బటన్ చేరింది.

చెరపడానికి ముందు తెలివైనవాళ్ళు చేసే పని ఒకటుంది. తమ జీవులను మిత్రుడి కార్ట్రిడ్జ్‌కు మార్పిడి చేసి, ఆట చెరిపి, కొత్తగా మొదలుపెట్టి, మళ్ళీ వెనక్కి తెచ్చుకుంటారు. కానీ కొత్త ఆటతో ఆటగాడి నంబరు మారిపోతుంది కాబట్టి, తిరిగొచ్చిన జీవి సొంతవాడినే పరాయివాడిగా చూస్తుంది. మార్పిడి జీవులు త్వరగా ఎదుగుతాయి, కానీ ఆటలో గెలుచుకునే బ్యాడ్జీలు సరిపడా లేకపోతే మాట వినవు. పుట్టింటికి పంపిన నగలు తిరిగొచ్చాక మెడకు సరిపోకపోవడం లాంటిది.

సెల్ చచ్చిపోతే

గోల్డ్, సిల్వర్ ఆటల్లో పగలు, రాత్రి నిజమైన గడియారంతో నడుస్తాయి. ఆ గడియారాన్ని తిప్పడానికి సీఆర్ 2025 సెల్ నిరంతరం పనిచేయాలి, అందుకే రెడ్, గ్రీన్ కార్ట్రిడ్జ్‌లకంటే ఇవి తొందరగా చల్లబడ్డాయి. ఒకరోజు తెరిస్తే ‘కంటిన్యూ’ అన్న వరుసే ఉండదు. ఎవరూ చెరపలేదు, చెరిగిపోయింది అంతే. కొత్త సెల్ వేయాలంటే పాతది టంకం విప్పాలి. విప్పితే ఏదైనా మిగిలుంటే అదీ పోతుంది.

గడియారాన్ని మాత్రమే తిరిగి పెట్టుకోవాలంటే కిందబాణం, సెలెక్ట్, బీ నొక్కాలి. అప్పుడు ఆట ఒక పాస్‌వర్డ్ అడుగుతుంది. ఆటగాడి పేరు, నంబరు, చేతిలోని డబ్బు కలిపి లెక్కకట్టిన సంఖ్య అది. మొత్తం ఆటను చెరపడానికి పాస్‌వర్డ్ అక్కర్లేదు గానీ గడియారం దిద్దడానికి కావాలి! సమయం ముందుకు జరిపి లాభం పొందేవాళ్ళను ఆపాలన్న పట్టుదల అంతదూరం తీసుకెళ్ళింది.

రూబీ, సఫైర్‌తో సేవ్ ఫ్లాష్ మెమరీలోకి మారింది, దానికి కరెంటు అక్కర్లేదు. ఈ ఆటల్లోనూ ఒక సెల్ ఉంది, కానీ గడియారానికే. అది అయిపోతే, ఆడుకోవచ్చు గానీ సమయంతో జరిగే పనులు ఇక జరగవని ఆట తెరిచిన ప్రతిసారీ చెబుతుంది. సేవ్ భద్రం. పైగా ఫ్లాష్‌లో రెండు ప్రతులు మార్చి మార్చి రాస్తుంది. ఒకటి పాడైతే అంతకుముందు సేవ్ తెరుచుకుంటుంది. మొదటి తరంలో ఫైలు పాడైతే, పాడైందని చెప్పి ఊరుకునేది.

రీసెట్‌తో లాభాలు

ఏ, బీ, స్టార్ట్, సెలెక్ట్ నాలుగూ ఒకేసారి నొక్కితే మొదటి తెరకు రావడం గేమ్‌బాయ్ ఆటల్లో మామూలు. ఇది పరికరం ఇచ్చిన సౌకర్యం కాదు. ఆటలు రాసినవాళ్ళు తమంతట తాము పెట్టుకున్న ఆనవాయితీ. టెట్రిస్‌లోనూ ఉంది. దీన్ని ఆటగాళ్ళు పనిముట్టుగా మార్చుకున్నారు. పోకెమాన్‌లో రంగు మారిన ‘షైనీ’ జీవి కనిపించే అవకాశం గోల్డ్, సిల్వర్ నుంచి 8192లో ఒకటి (ఎక్స్, వై నుంచి 4096లో ఒకటి). అరుదైన జీవి ఎదుట నిలబడి సేవ్ చేసుకుని, మామూలు రంగుది వస్తే రీసెట్ చేసి, మళ్ళీ తలుపు తట్టడం రోజుల తరబడి సాగే పని. గోల్డ్, సిల్వర్‌లో ఇంకో వింత కూడా ఉంది. పెట్టెలు మార్చేటప్పుడు సేవ్ మధ్యలో సరైన క్షణంలో స్విచ్ ఆపితే ఒక జీవి రెండవుతుంది. ఆపొద్దని ఆట వేడుకున్న క్షణమే పిల్లలకు టంకశాల అయింది.

ఇలాంటి రీసెట్ ఎత్తులకు మందు వేసిన ఆటలూ ఉన్నాయి. 2002-2004 మధ్య గేమ్‌బాయ్ అడ్వాన్స్‌లో వచ్చిన మూడు ‘ఫైర్ ఎంబ్లమ్’ ఆటల్లో చనిపోయిన సైనికుడు తిరిగి రాడు. ప్రతి అడుగునూ ఆట తనంతట తానే రాసుకుంటుంది కాబట్టి స్విచ్ ఆపి తెరిచినా చావు చావే, అధ్యాయం మొదటినుంచి ఆడుకోవాలి. ‘యానిమల్ క్రాసింగ్’ దారి వేరు. 2005లో డీఎస్‌కు వచ్చిన ‘వైల్డ్ వరల్డ్’లో సేవ్ చేయకుండా ఆపేస్తే, తరువాతిసారి ఇంటి ముందు నేలలోంచి రెసెట్టి అనే పందికొక్కులాంటి జీవి లేచి ఉపన్యాసం దంచుతుంది. తప్పు పెరిగేకొద్దీ తిట్లూ పెరుగుతాయి. 2012 నాటి ‘న్యూ లీఫ్’లో ఆ తిట్లు కావాలంటేనే ఊళ్ళో రెసెట్టి కేంద్రం కట్టుకోవాలి. 2020 నాటి ‘న్యూ హొరైజన్స్’లో ఆట దానంతటదే సేవ్ అవుతుంది, రెసెట్టికి పని పోయింది.

ఇక 2010లో ఒక చిత్రకథ ద్వారా వ్యాపించిన ‘నజ్‌లాక్’ పద్ధతిలో ఆటగాళ్ళే తమకు తాము శిక్ష వేసుకున్నారు. పడిపోయిన జీవిని వదిలేయాలి, అన్నీ పడిపోతే మొదటికి రావాలి. చెరిపివేత అక్కడ ఓటమికి పేరు.

చెరపనివ్వని ఆట

2011లో క్యాప్‌కామ్ 3డీఎస్ కోసం తెచ్చిన ‘రెసిడెంట్ ఈవిల్: ది మెర్సెనరీస్ 3డీ’ అసలు చెరపడానికే వీలివ్వలేదు. సేవ్‌ను తిరిగి మొదటికి తేలేమని దాని మాన్యువల్లోనే ఉంది. కార్ట్రిడ్జ్‌ను సెకండ్ హ్యాండ్‌లో కొన్నవాడికి, పాత యజమాని సంపాదించిన పాత్రలూ, ఆయుధాలూ ముందే తెరిచి ఉంటాయి, వాటిని మళ్ళీ మొదటినుంచి సంపాదించుకునే వీలుండదు. సెకండ్ హ్యాండ్ అమ్మకాలను దెబ్బతీయడానికే ఇలా చేశారని ఆటగాళ్ళు మండిపడ్డారు. ఆర్కేడ్ యంత్రాల తరహా ఆట కాబట్టే అలా చేశామని, పాత ఆటల అమ్మకంతో సంబంధం లేదని సంస్థ చెప్పుకుంది. ఏ కారణమైనా, ‘తుడిచే హక్కు’ కొన్నవాడిదా తయారీదారుదా అన్న ప్రశ్న అప్పుడు బాహాటంగా లేచింది.

కార్ట్రిడ్జ్ వదిలిన సేవ్

2004 డిసెంబరులో జపాన్‌లో వచ్చిన సోనీ పీఎస్‌పీ, మెమరీ స్టిక్ డ్యువో అనే కార్డులో సేవ్‌ను మామూలు ఫైలుగా ఉంచింది. బొమ్మతో, పేరుతో మెనూలో కనిపిస్తుంది, ఎంచుకుని తీసేయవచ్చు. రహస్య బటన్ల అవసరం అక్కడ తీరిపోయింది. 2017 మార్చి 3న వచ్చిన నింటెండో స్విచ్‌లో కార్ట్రిడ్జ్ ఆట మాత్రమే, సేవ్ పరికరంలోనే ఉంటుంది. చెరపాలంటే సెట్టింగ్స్‌లోని డేటా మేనేజ్‌మెంట్‌కు వెళ్ళాలి. 2018 సెప్టెంబరునుంచి చందా కట్టినవాళ్ళకు ఇంటర్నెట్‌లో నకలు దాచే సదుపాయం వచ్చింది. పోకెమాన్‌లాంటి కొన్ని ఆటలను అందులో చేర్చలేదు, పాత నకలు తెచ్చుకుని జీవులను రెట్టింపు చేసుకుంటారన్న భయం ఎలాగూ ఉంది.

దీంతో పాత సంతలో ఒక సరదా పోయింది. గేమ్‌బాయ్ కార్ట్రిడ్జ్ సెకండ్ హ్యాండ్‌లో కొంటే లోపల ఎవరో పిల్లవాడి పేరు, నోటికొచ్చిన బూతు పేరు పెట్టిన ప్రత్యర్థి, చివరి మజిలీ దగ్గర ఆగిపోయిన ప్రయాణం దొరికేవి. ఇప్పుడు అలాంటివి కొని సేకరించేవాళ్ళు సెల్ మార్చడానికి ముందు, కార్ట్రిడ్జ్ రీడర్ అనే చిన్న పరికరానికి తగిలించి సేవ్‌ను కంప్యూటర్లోకి నకలు తీస్తారు. సెల్ మార్చాక అదే సేవ్‌ను చిప్‌లోకి తిరిగి ఎక్కిస్తారు.