అసలుకు రెట్టింపు: తెలుగునాట తనఖా అప్పుల లెక్క

తనఖా అప్పు భారాన్ని రెండు విధాలుగా కొలవవచ్చు. ఏడాదికో నెలకో వందకు ఎంత వడ్డీ అని అడగడం ఒక పద్ధతి. అప్పు పూర్తిగా తీరి దస్తావేజు చేతికి తిరిగి వచ్చే నాటికి అసలూ వడ్డీ కలిసి ఎంత చెల్లుతుందని అడగడం మరొకటి. తెలుగు పల్లెల్లో నూటికి రూపాయి వడ్డీ, రెండు రూపాయల వడ్డీ అని నెల లెక్కన చెప్పుకునే అలవాటు ఈనాటికీ ఉంది. ఆ మాటలకు ఏడాదికి 12 శాతం, 24 శాతం అని అర్థమే కానీ, ఆ అప్పు పదేళ్లకో ఇరవై ఏళ్లకో ఎంతవుతుందో అవి చెప్పవు. ఈ రెండో ప్రశ్నను చట్టం కొన్ని కాలాల్లో సూటిగా అడిగింది, కొన్ని కాలాల్లో పూర్తిగా విడిచిపెట్టింది. తనఖా పెట్టిన వారి గతి చాలావరకు దానిమీదే ఆధారపడింది.

ప్రాచీన ధర్మశాస్త్రాలు రెండు ప్రశ్నలనూ కలిపే అడిగాయి. కుదువ ఉన్న అప్పుకు నెలకు అసలులో ఎనభయ్యో వంతు, అంటే ఏడాదికి 15 శాతం వడ్డీ తగినదని యాజ్ఞవల్క్య స్మృతి నిర్ణయించింది; దాంతో ఆగక, వడ్డీ పెరుగుదలకు వస్తువును బట్టి మేర కూడా పెట్టింది. బంగారం అప్పు రెట్టింపు వరకు, ధాన్యం మూడింతల వరకు, బట్టలు నాలుగింతల వరకు మాత్రమే పెరగాలి. ఈ స్మృతికి కల్యాణి చాళుక్యుల కాలంలో విజ్ఞానేశ్వరుడు రాసిన మితాక్షర వ్యాఖ్యను 13వ శతాబ్దంలో మూలఘటిక కేతన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు కనుక, రుణ వ్యవహారాల ధర్మం సంస్కృతం రాని తెలుగువారికీ అందుబాటులోకి వచ్చింది. వడ్డీ అసలును మించరాదన్న ఈ సూత్రమే తరువాతి కోర్టుల భాషలో దాందుపట్ అనే పేరుతో స్థిరపడింది.

అయితే ఆ సూత్రంలో ఒక ముఖ్యమైన ఎడం ఉంది. ఒక్కసారిగా వసూలు చేసే వడ్డీ అసలును మించరాదని మాత్రమే శాస్త్రం చెప్పింది కనుక, ఏటేటా కడుతూ వచ్చిన వడ్డీ ఆ లెక్కలోకి రాదు. క్రమం తప్పక వడ్డీ కట్టిన రుణగ్రస్తుడు 30 ఏళ్లలో అసలుకు నాలుగింతలు చెల్లించి ఉన్నా అసలు అలాగే నిలిచి ఉండేది. ఏమీ కట్టకుండా ఊరుకున్నవాడికే రెట్టింపు హద్దు అక్కరకు వచ్చేది. నిజాయతీగా కట్టేవాడికి రక్షణ లేని ఈ లోపం 20వ శతాబ్దం దాకా సవరణకు నోచుకోలేదు.

తనఖాల్లో శాస్త్రం గోప్యం, భోగ్యం అని తేడా చూపింది. అప్పు తీరేదాకా దాచి ఉంచడానికి ఇచ్చేది గోప్యం. అప్పిచ్చినవాడు అనుభవించడానికి ఇచ్చేది భోగ్యం. భూమిని భోగ్యంగా స్వాధీనపరిస్తే పంట అతడిది, దానికి బదులు వడ్డీ ఉండదు. గడువు దాటినంత మాత్రాన భోగ్యపు భూమి యజమానికి కాకుండా పోదని యాజ్ఞవల్క్యుడు చెప్పడం రైతుకు గొప్ప అండ అయింది. కానీ వడ్డీ లేని అప్పుగా కనబడే ఈ ఏర్పాటులోనే అసలు ఖరీదు అన్నిటికన్నా లోతుగా దాగి ఉంది. ఒక రైతు ఎకరం భూమిని 500 రూపాయలకు భోగ్యం పెట్టాడనీ, ఖర్చులు పోను దానిమీద ఏటా 60 రూపాయల ఫలసాయం వస్తుందనీ అనుకుంటే, కాగితంమీద వడ్డీ అనే మాట లేకపోయినా అతడు 12 శాతం వడ్డీ కడుతున్నట్టే. కాలువ నీరు వచ్చి దిగుబడి పెరిగినా ధాన్యం ధర హెచ్చినా ఆ ఫలసాయం 120 రూపాయలైతే, దస్తావేజులో ఒక్క అక్షరం మారకుండానే వడ్డీ 24 శాతమవుతుంది. పాతికేళ్లకు అప్పిచ్చినవాడికి అసలుకు ఎన్నో ఇంతలు ముట్టినా, భూమి విడిపించుకోవాలంటే రైతు మళ్లీ ఆ 500 రూపాయలూ లెక్కపెట్టాల్సిందే, ఎందుకంటే అనుభవించిన పంటలో ఒక్క గింజైనా అసలుకు జమ పడదు. భూమే చేతిలో లేని రైతు ఆ సొమ్ము ఎక్కడినుంచి కూడబెట్టగలడన్న ప్రశ్నను దస్తావేజు పట్టించుకోలేదు.

ఆంగ్లేయ పాలనలో ఈ పాత హద్దులు ఒక్కొక్కటిగా తొలగిపోయాయి. 1855 నాటి చట్టం వడ్డీ పరిమితులను రద్దు చేసి, ఇద్దరూ ఒప్పుకున్న రేటే చెల్లుతుందని శాసించింది. దాందుపట్ సూత్రం బొంబాయి ప్రాంతంలోనూ కలకత్తా నగరంలోనూ హిందువుల మధ్య నిలిచింది కానీ, మద్రాసు రాష్ట్రపు జిల్లాలకు వర్తించదని అక్కడి హైకోర్టు తేల్చడంతో సర్కారు జిల్లాల రైతుకూ రాయలసీమ రైతుకూ ఆ అండ లేకుండా పోయింది. గడువులోగా సొమ్ము కట్టకపోతే తనఖాయే క్రయంగా మారిపోయే షరతు విక్రయాల విషయంలో, మద్రాసు రాష్ట్రం నుంచి వెళ్లిన ఒక అప్పీలుపై 1870లో ప్రీవీ కౌన్సిల్ కాగితంలోని షరతునే అమలు చేసింది. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం తనఖాలను వర్గీకరించి, సొమ్ము చెల్లించి ఆస్తిని విడిపించుకునే హక్కును స్పష్టంగా రాసిన తరువాతే ఆ భయం కొంత తగ్గింది. కానీ ఆ చట్టం హక్కు ఇచ్చిందే తప్ప, విడిపించుకోవడానికి ఎంత చెల్లించడం న్యాయమన్న ప్రశ్న జోలికి పోలేదు.

మద్రాసు ప్రభుత్వం కోరగా ఫ్రెడరిక్ నికల్సన్ 1895లో, 1897లో రెండు సంపుటాలుగా ఇచ్చిన నివేదిక రాష్ట్రంలోని రైతుల అప్పును 45 కోట్ల రూపాయలుగా అంచనా వేసింది. 1930లో బ్యాంకింగ్ విచారణ సంఘం దాన్ని 150 కోట్లుగా, 1935లో సత్యనాథన్ నివేదిక 200 కోట్లుగా లెక్కగట్టాయి. ఈ అంకెల పెరుగుదలలో కొంత భాగం వ్యవసాయ విస్తరణది, కొంత రూపాయి విలువ మార్పుది కావచ్చు. కానీ 1929 తరువాతి ఆర్థిక మాంద్యం చేసిన హాని వేరు. ధాన్యం ధర దాదాపు సగానికి పడిపోయినప్పుడు దస్తావేజులోని రూపాయలు మాత్రం తగ్గలేదు కనుక, వంద బస్తాలు అమ్మితే తీరుతుందనుకున్న అప్పు రెండు వందల బస్తాలు అమ్మితే గాని తీరని స్థితి ఏర్పడింది. తనఖా అప్పును సొమ్ముగా చూసినంతకాలం ఈ మార్పు ఏ ఖాతాలోనూ కనిపించదు. పంటగా చూస్తేనే అప్పు రెట్టింపైన సంగతి తెలుస్తుంది.

ఇంతకంటే ముందే మన్యంలో ఒక చట్టం పాత సూత్రాన్ని తిరిగి నిలబెట్టింది. గంజాం, విశాఖపట్నం, గోదావరి ఏజెన్సీలకు వర్తించిన 1917 నాటి వడ్డీ, భూమి బదిలీ చట్టం గిరిజనులపై 24 శాతానికి మించిన వడ్డీని గానీ చక్రవడ్డీని గానీ కోర్టులు ఒప్పుకోకూడదనీ, మొత్తం వడ్డీ అసలును మించరాదనీ ఆదేశించింది. ప్రభుత్వ ప్రతినిధి అనుమతి లేకుండా గిరిజనేతరులకు జరిగే భూ బదిలీలు చెల్లవని కూడా చెప్పింది. మైదానపు రైతుకు ఇలాంటి రక్షణ రావడానికి మరో 21 ఏళ్లు పట్టింది. నిజాం రాజ్యంలోని తెలంగాణలో ఈ బాధ మరింత కఠోరమైన రూపం తాల్చింది: అక్కడి భగేలా పద్ధతిలో తనఖా పడింది భూమి కాదు, మనిషి శ్రమ. వడ్డీ కింద కూలి జమ అవుతూ అసలు తరతరాలు నిలిచే ఆ పద్ధతిని భోగ్యపు తనఖాకు మనిషి రూపమనవచ్చు. ఇలాంటి ఒప్పందాలకు 1936 నాటి నిబంధన కాలపరిమితి విధించింది.

1938 మార్చి 22న అమల్లోకి వచ్చిన మద్రాసు వ్యవసాయదారుల రుణ విమోచన చట్టం ఈ చరిత్రలో అన్నిటికన్నా సాహసోపేతమైనది. చక్రవర్తి రాజగోపాలాచారి ప్రధానిగా, టంగుటూరి ప్రకాశం రెవెన్యూ మంత్రిగా ఉన్న ప్రభుత్వం తెచ్చిన ఈ చట్టం 1932 అక్టోబరు 1కి ముందు చేసిన అప్పులపై 1937 అక్టోబరు 1 నాటికి నిలిచి ఉన్న వడ్డీ మొత్తాన్నీ కొట్టివేసింది. అసలు కిందనో వడ్డీ కిందనో అప్పటికే అసలుకు రెట్టింపు చెల్లించి ఉంటే అప్పు పూర్తిగా తీరినట్టే అని కూడా ప్రకటించింది. శాస్త్రం వదిలేసిన లోపం ఇక్కడ పూడింది: ఏటేటా కట్టిన వడ్డీ మొదటిసారి లెక్కలోకి వచ్చింది, క్రమంగా కట్టినవాడికే ఎక్కువ మేలు కలిగింది. పాత వడ్డీని అసలులో కలిపి నోటు తిరగరాసే అలవాటు తెలుగునాట ఎంత పాతుకుపోయిందో తెలిసినవారు రాసిన చట్టం కావడంతో, ఎన్నిసార్లు తిరగరాసినా మొదట చేతికిచ్చిన సొమ్మే అసలని అది నిర్వచించింది. కొత్త అప్పులకు ఏడాదికి 6.25 శాతం బారువడ్డీని, అంటే వడ్డీమీద వడ్డీ లేని రేటును, గరిష్ఠంగా పెట్టింది. ఈ చట్టం వల్ల అప్పు పుట్టడం కష్టమైందన్న విమర్శలో నిజం లేకపోలేదు. అయినా అప్పు మొత్తం ఖరీదుకు చట్టంలో అంకెతో గీత గీయడం సాధ్యమని అది నిరూపించింది.

భోగ్యపు తనఖాలకు మొదట ఈ చట్టంలో చోటు దక్కలేదు. 1948 సవరణ ఆ తలుపు తెరిచింది. అప్పిచ్చినవాడు 30 ఏళ్లు భూమిని అనుభవించి ఉంటే, కొన్ని మినహాయింపులకు లోబడి, అప్పు తీరినట్టే. అంతకన్నా తక్కువైతే అనుభవించిన కాలానికి తగినంత అసలు తగ్గుతుంది. అంటే 15 ఏళ్ల అనుభవానికి సగం అసలు పోతుంది. అనుభవించిన పంటకు అసలులో జమ పడే హక్కును కనీసం ఉజ్జాయింపుగానైనా చట్టం గుర్తించడం గమనించదగిన మలుపు.

ఈ చట్టాలతో పాటు మరో మార్గం కూడా అప్పటికే మొదలైంది. 1925 నుంచి మద్రాసు రాష్ట్రంలో ఏర్పడిన భూమి తనఖా బ్యాంకులు, 1929లో వాటికి నిధులు సమకూర్చడానికి వెలసిన కేంద్ర భూమి తనఖా బ్యాంకు, పాత అప్పులు తీర్చుకోవడానికి రైతుకు దీర్ఘకాలిక రుణమిచ్చి సమాన వాయిదాలలో వసూలు చేశాయి. ప్రతి వాయిదాలోనూ కొంత వడ్డీ, కొంత అసలు ఉండటం ఇందులోని విశేషం. 1,000 రూపాయలు 6 శాతానికి 20 ఏళ్ల వార్షిక వాయిదాలపై తీసుకుంటే ఏటా 87 రూపాయల చిల్లర కట్టాలి. మొత్తం సుమారు 1,744 రూపాయలతో అప్పు తీరుతుంది. రెట్టింపు గీత లోపలే ఉన్న ఈ లెక్క, అప్పు చేసిన నాడే ఆఖరు వాయిదా తేదీ తెలియడమనే భరోసా, భోగ్యానికి భూమి అప్పగించిన కుటుంబాలు ఎరగనివి.

నేటి గృహరుణం ఆ సమాన వాయిదాకు వారసురాలే. అయితే ఏడాదికి బదులు నెలకు వాయిదా వచ్చింది, రేటు పెరిగింది, గీత దాటింది. 30 లక్షల రూపాయలు 9 శాతానికి 20 ఏళ్లపాటు తీసుకుంటే నెలసరి వాయిదా, అంటే ఈఎంఐ, సుమారు 26,992 రూపాయలు. మొదటి నెలలో అందులో 22,500 వడ్డీకే పోయి అసలుకు 4,492 రూపాయలు మాత్రమే జమ పడతాయి. ఐదేళ్లలో 16 లక్షల పైచిలుకు కట్టాక కూడా 26.6 లక్షల అసలు నిలిచే ఉంటుంది. చివరికి చెల్లేది సుమారు 64.78 లక్షలు. 20 ఏళ్ల గడువుకు 8 శాతం రేటు దగ్గరే మొత్తం చెల్లింపు అసలుకు రెట్టింపవుతుంది. 20 ఏళ్ల తరువాతి రూపాయి నేటి రూపాయంత విలువైనది కాదు కనుక, జీతం పెరిగే కుటుంబానికి ఈ భారం మాంద్యపు రైతు భారంలా ఏటా బరువెక్కదు, క్రమంగా తేలికవుతుందన్నది న్యాయంగా ఒప్పుకోవాల్సిన మాట. అయినా తొలి ఏళ్లలో అసలు తరగని తీరు చాలామంది రుణగ్రస్తులకు ఇల్లు అమ్మదలచిన నాడు గానీ తెలియడం లేదు.

రేటు మారే రుణాల్లో ఈ మరుగు ఇంకా చిక్కనవుతుంది. 7 శాతానికి 20 ఏళ్లకు తీసుకున్న 30 లక్షల అప్పుకు వాయిదా 23,259 రూపాయలు, మొత్తం 55.8 లక్షలు. రుణం మొదలైన కొద్దికాలానికే రేటు 9 శాతానికి పెరిగి, వాయిదాను మార్చకుండా గడువును మాత్రమే పొడిగిస్తే, అదే వాయిదాతో అప్పు తీరడానికి 38 ఏళ్లు పడుతుంది, మొత్తం కోటి రూపాయలు దాటుతుంది. నెల నెలా ఖాతాలోంచి పోయే అంకె మారదు కనుక ఇంట్లో ఎవరికీ తేడా కనిపించదు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి వరకు రెపో రేటు, అంటే రిజర్వు బ్యాంకు ఇతర బ్యాంకులకు స్వల్పకాలిక అప్పులిచ్చే రేటు, 4 శాతం నుంచి 6.5 శాతానికి పెరిగినప్పుడు ఎన్నో కుటుంబాలకు గడువులు ఇలా సాగాయి. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు, రేటు మారినప్పుడు వాయిదా పెంచుకోవాలో గడువు పెంచుకోవాలో ఎంచుకునే వీలు రుణగ్రస్తుడికి ఉండాలని ఆదేశించింది. రేటు మారే గృహరుణాన్ని ముందే తీర్చేస్తే బ్యాంకులు జరిమానా వేయడాన్ని 2012లోనే నిషేధించింది.

రెట్టింపు హద్దు మాత్రం బ్యాంకు అప్పుల దరి చేరలేదు. పైగా 1984లో బ్యాంకింగ్ నియంత్రణ చట్టంలో చేరిన 21ఎ సెక్షను, వడ్డీ మితిమీరిందన్న కారణంతో బ్యాంకు అప్పు ఖాతాను కోర్టులు తిరగదోడకూడదని నిర్దేశించింది. హద్దు స్థానంలో ఇప్పుడు వెల్లడి వచ్చింది: 2024 అక్టోబరు 1 నుంచి ప్రతి వ్యక్తిగత రుణగ్రస్తుడికీ ముఖ్య వివరాల పత్రం ఇవ్వాలి, అందులో రుసుములన్నీ కలిపిన వార్షిక ఖర్చు శాతం, వాయిదా వారీగా అసలెంత వడ్డీ ఎంత అన్న పట్టిక ఉండాలి. రేటు మారే రుణంలో ఆ పట్టిక సంతకం చేసిన నాటి రేటుకే సరిపోతుంది. రేటు మారిన ప్రతిసారీ కొత్త పట్టిక అడిగి తీసుకుని, ఆఖరు వాయిదా ఏ ఏటికి జరిగిందో చూసుకోవాల్సిన పని రుణం తీసుకున్న కుటుంబానిదే.