కుంచె, గంటము, కలము

కటవారియా సరాయ్ నుండి దక్షిణముగా బయలుదేరినచో రెండు మైళ్ల లోపుననే కుతుబ్ మీనారు ఎదురగును. ఊరినుండి వచ్చిన చుట్టములను వెంటబెట్టుకొని ఒక్కసారియైన అచ్చటికి పోని తెలుగు కుటుంబము ఢిల్లీలో అరుదు. 72.5 మీటర్ల ఆ స్తంభము ఎత్తును చూచి ఆశ్చర్యపడిన పిమ్మట మన దృష్టి దాని నడుమునకు కట్టిన వడ్డాణములవలె నున్న అరబ్బీ అక్షరములపై నిలుచును. మనలో చాలమంది వానిని చదువలేరు. చదువలేకయు చూచి ఆనందింతురు. అక్షరము చదువుటకు మాత్రమే కాక చూచుటకును ఏర్పడినదని ఆ రాళ్లు చెప్పుచున్నవి.

అక్షరమునకును బొమ్మకును గల ఈ చుట్టరికమును మిక్కిలి దూరము సాగించినవారు చీనా దేశీయులు. వారి ప్రాచీన చిత్రములలో ఒక కొండ, దాని నడుమ పొగమంచు, క్రింద ఏరు, ఏటిపై ఒక చిన్న పడవ కనబడును. ఖాళీగా విడిచిన చోట నిలువు పంక్తులలో ఒక పద్యమును, దాని చివర ఎఱ్ఱని ముద్రయు నుండును. ఆ పద్యము బొమ్మకు పెట్టిన పేరు కాదు, దానికి వ్యాఖ్యానమును కాదు. బొమ్మలో అదియు నొక భాగము. కవిత్వము, లేఖనము, చిత్రము అను మూటిని వారు మూడు పరిపూర్ణతలుగా గణించిరి. ఈ మూటను ఒక్కచేతితో సాధించినవాడే వారి దృష్టిలో సంపూర్ణుడైన కళావేత్త.

ఇట్టి ఐక్యము అచ్చట ఏల కలిగినది? మన దేశమున ఏల కలుగలేదు? చీనావారి హృదయము వేరు, మన హృదయము వేరు అని చెప్పి ఊరకుండుట సులభము. కాని నాకు తోచిన కారణము అంతకంటె చిన్నది, చేతికి అందునది. కవిత్వమును చిత్రమును కలుపునది భావము మాత్రమే కాదు, పనిముట్టు కూడ.

చీనావారు వ్రాతకు వాడినది కుంచె. జంతువుల వెండ్రుకలను వెదురుకాడకు బిగించి చేసిన కుంచె, మసిని జిగురుతో కలిపి అచ్చుపోసిన సిరాకడ్డీ, దానిని నీటితో అరగదీయు రాయి, కాగితము అను నాల్గును వారికి చదువుగదిలోని నిధులు. అక్షరాభ్యాసము నాటినుండియు బాలుడు గీతను ఎచ్చట ఒత్తవలెనో, ఎచ్చట తేల్చవలెనో, ఎచ్చట సిరా ఆరిపోవు దనుక లాగవలెనో నేర్చును. వెదురాకును గీయుటకు కావలసిన విద్యయు ఇదియే. కావున పద్యము వ్రాసినవాడు చిత్రమునకు దిగునపుడు వేఱొక పరికరమును చేపట్టనక్కరలేదు. చేతిలోని కుంచెను క్రింద పెట్టనక్కరలేదు.

మన సంఘ సభ్యులకు ప్రత్యేకముగా విన్నవింపదగిన విషయ మొకటి గలదు. ఆ కవిచిత్రకారులలో పెక్కుమంది ప్రభుత్వోద్యోగులు. పరీక్షలు వ్రాసి, ఉత్తీర్ణులై, కొలువులలో ప్రవేశించి, ఊరినుండి ఊరికి బదిలీ అగుచు జీవించినవారు. పగలు విజ్ఞాపనలు వ్రాసిన కుంచెతోనే సాయంకాలము కొండలను గీచిరి. టాంగు యుగమునకు చెందిన వాంగ్ వెయ్ ఎనిమిదవ శతాబ్దమున రాజాస్థానమునం దుద్యోగి. తన వాంగ్‌చువాన్ పల్లెపట్టులోని ఇరువది దృశ్యములపై ఆతడును, మిత్రుడు పెయ్ డీయును చిన్న చిన్న పద్యములు చెప్పిరి. ఆ పట్టునే ఆతడు చిత్రించెను. మూలచిత్రము నశించినది, తరువాతివారి ప్రతులే నిలిచినవి. మూడు శతాబ్దములు గడచిన పిమ్మట సూ షీ (1037–1101) అను మహాకవి, వాంగ్ వెయ్ కవితను చిత్రముగను, చిత్రమును కవితగను అనుభవింపవచ్చునని తీర్పు చెప్పెను. నేటికిని చీనా కళను గూర్చి మాటలాడువారు ఆ తీర్పునుండియే ప్రారంభింతురు.

సూ షీయు ఉద్యోగియే. ఆతనికి వెన్ తుంగ్ అను బంధుమిత్రుడుండెను. వెదురును చిత్రించుటలో వెన్ తుంగ్ అద్వితీయుడు. వెదురు ముందుగా చిత్రకారుని హృదయమున పూర్తిగా పెరుగవలెననియు, అటుపిమ్మట డేగ కుందేలుపై వ్రాలినట్లు కుంచె కాగితముపై వ్రాలవలెననియు ఆతని పద్ధతిని సూ షీ వివరించెను. 1079లో వెన్ తుంగ్ క్రొత్త ఉద్యోగస్థానమునకు పోవుచు మార్గమధ్యమున మరణించెను. ఆ యేడే వేసవిలో సూ షీ తన పుస్తకములను, చిత్రములను ఎండబెట్టుచుండగా మిత్రుడు గీచియిచ్చిన వెదురు బొమ్మ బయటపడెను. దానిని చూచి ఆతడు పుస్తకములను ప్రక్కకు త్రోసి విలపించెను. ఆ దుఃఖమునే వ్యాసముగా వ్రాసెను. కొలది దినములకే, పద్యములలో ప్రభుత్వమును నిందించెనను అభియోగముపై సూ షీ బంధింపబడి, విచారణానంతరము హ్వాంగ్‌జౌకు బహిష్కృతుడయ్యెను. కుంచె ఒక్కటియే గనుక దాని ప్రతిఫలమును ఒక్కటియే: మిత్రుని స్మరించినదియు, శిక్షను తెచ్చినదియు అదియే.

ఉద్యోగుల కళను సింహాసనముపైకి చేర్చినవాడు హుయిజోంగ్ చక్రవర్తి (పాలన 1100–1125). స్వయముగా కవి, చిత్రకారుడు, నూతనమైన వ్రాతశైలిని కల్పించిన లేఖకుడు. 1112లో రాజద్వారముపై కొంగలు ఎగిరిన దృశ్యమును పద్యముతోగూడ చిత్రించిన పటము ఆతని పేర నేటికిని లియావొనింగ్ మ్యూజియమున నున్నది. ఆతని చిత్రకళాశాలలో ప్రవేశమునకు పద్యపాదమునిచ్చి బొమ్మ వేయుమనుచుండిరట. పూలను త్రొక్కివచ్చిన గుఱ్ఱపు డెక్కల పరిమళమును చూపుమన్నపుడు అభ్యర్థులు తెల్లబోయిరనియు, ఒకడు మాత్రము డెక్కల చుట్టును సీతాకోకచిలుకలను గీచి గెలిచెననియు కథ గలదు. పువ్వును గీచుట నేర్పు. పరిమళమును గీచుట కవిత్వము. అయినను కళ రాజ్యమును కాపాడలేదు. 1127లో జుర్చెన్ సేనలు ఆ చక్రవర్తిని బందీగా ఉత్తరమునకు గొనిపోయినవి. ఆతడు 1135లో చెరలోనే మరణించెను.

తరువాత మంగోలులు దక్షిణమును గూడ జయింపగా సుంగు వంశము 1279లో అంతరించెను. క్రొత్త ప్రభువుల కొలువున చేరవలెనా, మానవలెనా అను ప్రశ్న ప్రతి విద్వాంసునికిని ఎదురయ్యెను. రాజవంశీయుడే యగు జావ్ మెంగ్‌ఫూ కొలువున చేరెను. జెంగ్ సీషియావ్ చేరలేదు. ఆతడు 1306లో గీచిన నల్లని ఆర్కిడ్ మొక్క జపానునందలి ఒసాకా మ్యూజియమున గలదు. కొన్ని ఆకులు, ఒక పువ్వు, ప్రక్కన పద్యము, అంతియే. మొక్క క్రింద మన్ను లేదు. నేలను పరాయివారు హరించిరి గనుక మొక్క ఎచ్చట నాటుకొనునని ఆతని భావము. కుంచె ఎక్కడ గీయలేదో అక్కడనే ఆతని కోపమంతయు నిలిచినది.

చీనా చిత్రమునకు మరియొక విశేషము గలదు. అది చిత్రకారునితో ముగియదు. దానిని పొందినవారును, చూచినవారును తరతరములుగా తమ పద్యములను చేర్చి ముద్రలు వేయుదురు. మన కార్యాలయములలో దస్త్రముపై ఒకరి క్రింద నొకరు నోటు వ్రాసి సంతకము చేసినట్లే యుండును. చియెన్‌లుంగ్ చక్రవర్తి (పాలన 1735–1796) ప్రాచీన పటములపై వ్రాసిన పద్యములకును, వేసిన ముద్రలకును లెక్కయే లేదు. కొన్ని పటములలో ఆతని ముద్రలు కొండలకంటె ముందుగా కంట బడును. అధికారి నోటు దస్త్రమును కప్పివేయుట క్రొత్త కాదన్నమాట.

ఇక మన సంగతి. విష్ణుధర్మోత్తర పురాణమున వజ్రరాజు ప్రతిమాలక్షణమును బోధింపుమని మార్కండేయుని ప్రార్థించును. ప్రతిమలు తెలియుటకు చిత్రము తెలియవలెను, చిత్రమునకు నృత్యము, నృత్యమునకు వాద్యము, వాద్యమునకు గీతము తెలియవలెనని ఋషి సమాధానము. చీనావారు చిత్రమును వ్రాతతో ముడివేయగా మనవారు నృత్యముతో ముడివేసిరి. మన బొమ్మలో ప్రధానమైనది అభినయము. వారి బొమ్మలో ప్రధానమైనది గీత.

దీనికి మన పనిముట్లును తోడ్పడినవి. తెలుగు కవి వ్రాసినది తాటియాకుపై గంటముతో. గంటము ఆకును గీకును. మసి పూసి తుడిచినచో గీతలోని నలుపు నిలుచును. దానిని ఒత్తి లావు చేయుటకును, తేల్చి పలుచన చేయుటకును చీనా కుంచెకున్న స్వేచ్ఛ లేదు. ఒడిసాలో గంటముతోనే ఆకులపై చక్కని బొమ్మలు గీచిరి గాని మనలో ఆ మార్గము విస్తరింపలేదు. మన చిత్రకారుడు సున్నపు పూత పూసిన గోడలమీదను, కప్పులమీదను కుంచెతో పనిచేసెను. కవి కూర్చున్న పీట వేఱు, చిత్రకారుడు నిలిచిన పరంజా వేఱు. కులములును వేఱు, గౌరవములును వేఱు. కవి ప్రతి ఆశ్వాసము చివరను గద్యమున తన పేరును, తండ్రి పేరును చెప్పుకొనెను. పదునారవ శతాబ్దమున లేపాక్షి వీరభద్రాలయపు కప్పుపై కిరాతార్జునుల నడుమ వరాహమును నిలిపిన చిత్రకారుని పేరు ఎందరికి తెలియును? విరుపణ్ణ పేరు మాత్రము అందరికిని తెలియును.

అట్లని మన కవులకు చిత్రముపై మక్కువ లేదని కాదు. క్రీడాభిరామమున ఓరుగంటి మాచలదేవి చిత్రశాల వర్ణింపబడినది. పద్మబంధము, నాగబంధము, చక్రబంధము అనుచు అక్షరములనే బొమ్మగా కూర్చిన కవులు మనకు పెక్కుమంది. కాని ఆలంకారికులు అట్టి రచనను అధమ కావ్యముగా ఎంచిరి. మన బంధకవిత్వమున బుద్ధి శ్రమించినది, చేయి శ్రమింపలేదు.

అయితే గంటమును కుంచెయు ఒక్కటైన చోటు తెలుగునాట ఒకటి గలదు. అది స్వర్ణముఖీ తీరమున శ్రీకాళహస్తి. కలంకారి అను పేరు పారశీకము. కలముతో చేసిన పని అని అర్థము. వెదురుపుల్ల కొనను సన్నగా చెక్కి, కొంచెము పైన ఉన్నిని గాని గుడ్డను గాని చుట్టి దారముతో బిగించినచో కలము సిద్ధమగును. ఆ చుట్టు రంగును త్రాగి, వ్రేళ్లు నొక్కినకొలది కొనకు దింపును. నూలుబట్టను కరక్కాయ, గేదెపాలు కలిపిన ద్రవమున తడిపి ఆరవేయుదురు. పాలలోని క్రొవ్వు రంగును చెదరనీయదు. ఇనుప తుక్కును బెల్లపు నీటిలో ఊరవేసి తీసిన ద్రవము కరక్కాయ తగిలిన బట్టపై పడగానే నల్లబడును. ఎఱుపునకు పటికయు చిరివేరు వంటి వేళ్లును, నీలమునకు నీలిమందును వాడుదురు. అటుపిమ్మట ఏటినీటిలో ఉదుకుదురు.

ఆ బట్టపై రామాయణమో భారతమో వరుసలు వరుసలుగా సాగును. వరుసకు తోడుగా ఆ కథను తెల్పు తెలుగు వాక్యములుండును. రాముని విల్లును గీచిన కలము, గీచిన ఆ నల్లని ద్రవము, ఆ రెండే అక్షరములను గూడ వ్రాసినవి. చీనావారికి కుంచెతో కలిగిన ఐక్యము మనకు కలముతో కలిగినది. భేద మొక్కటే: వారి దేశమున ఆ పని చేసినవానిని మహాకవియనిరి, మన దేశమున పనివాడనిరి.

ఇరువదవ శతాబ్దమున ఈ వేర్పాటు కొంత సడలెను. రాజమహేంద్రవరము కళాశాలకు ప్రధానాచార్యుడైన ఆస్వాల్డ్ కూల్డ్రే స్వయముగా కవి, చిత్రకారుడు. దామెర్ల రామారావు (1897–1925), అడివి బాపిరాజు (1895–1952) ఆతని ప్రోత్సాహమున ఎదిగిరి. బాపిరాజు బందరునందలి ఆంధ్ర జాతీయ కళాశాలలో ప్రమోదకుమార చటోపాధ్యాయుని కడ చిత్రలేఖనమభ్యసించెను; ‘శశికళ’ గీతములు పాడెను; ఆయన ‘నారాయణరావు’ నవల 1934లో విశ్వనాథవారి ‘వేయిపడగలు’తో ఆంధ్ర విశ్వకళాపరిషత్తు బహుమానమును పంచుకొనెను. కవియు చిత్రకారుడును ఒక్క దేహమున వసింపవచ్చునని తెలుగువారు కన్నులార చూచిరి. కాని ఆయన పద్యము పుస్తకమున, బొమ్మ చట్రమున వేఱువేఱుగనే నిలిచినవి. ఒక్క పటముపై రెండును నిలిచినది కాళహస్తి బట్టపైననే.

1950వ దశకమున అఖిలభారత హస్తకళల బోర్డు శ్రీకాళహస్తిలో శిక్షణకేంద్రమును నెలకొల్పి, అడుగంటుచున్న ఆ విద్యకు ఊపిరి పోసినది. 2008లో కలంకారి కళాకారుడు జొన్నలగడ్డ గురప్పశెట్టికి పద్మశ్రీ లభించినది. పనివానికి పేరు వచ్చినది, అది సంతోషకరము. కాని పరిశీలించి చూడుడు. నేడు ఢిల్లీ అంగళ్లలో అమ్మకమునకు వచ్చు బట్టలలో పెక్కింటిపై నెమళ్లు, చెట్లు, దేవతలు గలరు గాని అక్షరములు లేవు. కొనువారికి తెలుగు రాదు గనుక అమ్మువారు అక్షరములు వ్రాయించుట లేదని తలచుట సహజము. ఒక్కొక్క వాక్యము మాయమైనపుడెల్ల మనకు గల ఆ ఒక్క ఐక్యమునుండి ఒక్కొక్క పోగు తెగుచున్నది.

మన ఇండ్ల గోడలపైనను కాళహస్తి బట్టలు వ్రేలాడుచున్నవి. ఉత్తరదేశపు అతిథి ఒకడు వచ్చి, బొమ్మల క్రింద నున్న ఆ గుండ్రని గీతలేమని మన పిల్లల నడిగినచో వారేమి చెప్పుదురు? కుతుబ్ మీనారు అక్షరములను మనము చూచినట్లే, వారును చూచి ఆనందించి ఊరకుందురా? ఈ ఆదివారము ఆ బట్టను గోడనుండి దింపి, పిల్లవానిని ప్రక్కన కూర్చుండబెట్టుకొని, వ్రేలు పెట్టి ఒక్క వరుస చదివింపుడు. బొమ్మ కదలుట వాడే చూచును.