ఏరి పెట్టిన చప్పుళ్ళు

మొన్న మినప్పప్పు రుబ్బుతుంటే మా మిక్సీ ప్రాణం విడిచింది. ఊరికే విడిచిందా! ముందు గుర్రుమంది, తరవాత కీచుమంది, ఆఖరికి సన్నగా మూలిగి, కాస్త పొగ వదిలి ఊరుకుంది.

"దెయ్యాల సినిమాలా ఉందే!" అన్నారు మా అత్తగారు గుమ్మంలోంచి. ఆవిడ వేళాకోళానికే అన్నా, నాకు మాత్రం బీబీ బారన్ గుర్తొచ్చింది.

బీబీ అంటే మన బీబీ నాంచారమ్మ కాదులెండి. అమెరికా ఆవిడ. 1925లో మినియాపొలిస్‌లో పుట్టింది. అసలు పేరు షార్లెట్. 1947లో లూయీ బారన్‌ని పెళ్ళాడింది. మన పెళ్ళిళ్ళకైతే స్టీలు గిన్నెలూ, గోడ గడియారాలూ చదివిస్తారు. వాళ్ళకి టేప్ రికార్డర్ వచ్చింది! అప్పటికది అపురూపమైన వస్తువు. దాంతో న్యూయార్క్ గ్రీనిచ్ విలేజ్‌లో సొంత స్టూడియో పెట్టుకున్నారు.

నోర్బర్ట్ వీనర్ 1948లో రాసిన 'సైబర్నెటిక్స్' పుస్తకం చదివి లూయీ సర్క్యూట్లు తయారు చేసేవాడు. కరెంటు ఎక్కువయ్యేకొద్దీ అవి కుయ్యిమని మూలిగి, గగ్గోలు పెట్టి, చివరికి కాలిపోయేవి. కాలినదాన్ని మళ్ళీ అలాగే అరిపించడం ఎవరి తరమూ కాదు. అందుకని ఆ మూలుగులన్నీ టేపుకెక్కించేవారు.

ఇక అక్కణ్ణించి బీబీ పని. గంటల తరబడి ఆ గోల వింటూ కూర్చుని, పనికొచ్చే ముక్కలు ఏరేది. వాటి వేగం తగ్గించీ పెంచీ, తిరగేసీ, కత్తిరించి అతికించీ సంగీతం చేసేవారు. చేటలో బియ్యం పోసుకుని రాళ్ళేరిన వాళ్ళకి ఆ ఓపికేమిటో నేను చెప్పక్కర్లేదు. పంటికింద రాయి పడ్డప్పుడు తప్ప ఆ పని ఇంట్లో ఇంకెవరికీ గుర్తురాదు కదా!

వీళ్ళని ముందుగా పిలిచింది పెద్ద కంపెనీలు కాదు, సొంతంగా చిన్న చిత్రాలు తీసుకునేవాళ్ళు. 1952లో ఇయాన్ హ్యూగో 'బెల్స్ ఆఫ్ అట్లాంటిస్' తీశాడు. అందులో అతని భార్య, రచయిత్రి అనాయిస్ నిన్ కనిపిస్తుంది. 1958లో షర్లీ క్లార్క్ న్యూయార్క్ వంతెనల మీద తీసిన చిన్న చిత్రానికి రెండు సంగీతాలున్నాయి: ఒకటి జాజ్, రెండోది బారన్లది. రెండూ వింటే అవే వంతెనలా అనిపిస్తుంది!

మధ్యలో, 1956లో, ఎం.జి.ఎం. వారి 'ఫర్బిడెన్ ప్లానెట్'. నిడివి పెద్ద చిత్రానికి పూర్తిగా ఎలక్ట్రానిక్ సంగీతం అదే మొదలు. అందులో రాక్షసుడు చచ్చేటప్పుడు మనం వినేది నిజంగా ఒక సర్క్యూట్ చావుకేకే. అయితే సంగీతకారుల సంఘంతో పేచీ వస్తుందని, తెరమీద 'సంగీతం' అన్న మాట తీసేసి 'ఎలక్ట్రానిక్ టొనాలిటీస్' అని వేశారు. దాంతో ఆస్కార్ సంగీత బహుమతికి లెక్కలోకే రాలేదు. అన్నం వండినవాళ్ళని 'నిప్పు రాజేసినవారు' అన్నట్టు లేదూ?

1970లో దంపతులు విడిపోయారు. అయినా 1989లో లూయీ పోయేదాకా కలిసే పనిచేశారు. తరవాత చాన్నాళ్ళు బీబీ ఊరుకుంది. 2000లో, డెబ్భై అయిదో ఏట, కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం వాళ్ళు శాంటా బార్బరాకి పిలిస్తే వెళ్ళి, కొత్త పరికరాలతో 'మిక్స్‌డ్ ఎమోషన్స్' చేసింది. 2008లో కన్నుమూసింది.

ఆ మాట చెప్తే మా అత్తగారు మిక్సీ వంక చూసి, "ముందే చెబితే దీన్నీ రికార్డు చేసేవాళ్ళం గదమ్మా!" అన్నారు.