మన సత్తెనపల్లి పట్టాల మీదికి కరెంటు ఎట్లా వచ్చింది

పోస్టు కొంచెం పొడుగు, ఓపిగ్గా చదవండి.

మా హాస్టల్లో ఎరుకల, యానాది, సుగాలి పిల్లలం కలిసే ఉంటాం. మాలో చాలామందిమి మా ఇళ్లల్లో కాలేజీకి వచ్చిన మొదటివాళ్లం. పోటీ పరీక్షలకు చదివేటప్పుడు రైల్వే చరిత్ర అంటే తేదీలే వస్తాయి. ఆ తేదీల పక్కన మనవాళ్లు ఎక్కడున్నారో చూద్దామని ఇది రాస్తున్నాం.

ముందు ఆవిరి ఇంజను కాలం. రైలు రాకముందు కోస్తా ఉప్పును లోపలి ఊళ్లకు, అక్కడి ధాన్యాన్ని కోస్తాకు ఎద్దుల మీద, గాడిదల మీద మోసింది ఎరుకలవాళ్లు, లంబాడీలు. పందొమ్మిదో శతాబ్దం రెండో సగంలో ఆ సరుకు రైలెక్కింది. దానికి తోడు ఉప్పు మీద సర్కారు పట్టు బిగిసింది. బతుకుతెరువు పోయి తిరిగేవాళ్ల మీద తెల్లదొరలు దొంగల ముద్ర వేశారు. 1871లో ఉత్తరాదిన మొదలైన నేరస్థ జాతుల చట్టం 1911లో మద్రాసు ప్రెసిడెన్సీకి వచ్చింది. మనకు దగ్గర్లోని సీతానగరం, స్టూవర్టుపురం సెటిల్మెంట్లు అట్లా పుట్టినవే.

ఇక కరెంటు సంగతి. 1879లో బెర్లిన్ ప్రదర్శనలో వెర్నర్ సీమెన్స్ చిన్న కరెంటు ఇంజనుతో జనాన్ని ఎక్కించి తిప్పాడు. మన దేశంలో 1925 ఫిబ్రవరి 3న బొంబాయి విక్టోరియా టెర్మినస్ నుంచి కుర్లా దాకా మొదటి కరెంటు రైలు నడిచింది. 1931లో మద్రాసు బీచ్–తాంబరం లైనుకు వచ్చింది. రెండూ 1,500 వోల్టుల డీసీ.

కరెంటు ఎందుకు మేలు? ఆవిరి ఇంజను తన బొగ్గూ నీళ్లూ తనే మోసుకోవాలి. డీజిల్ ఇంజనూ అంతే. అది లోపల జనరేటర్ తిప్పి, ఆ కరెంటుతోనే మోటార్లు నడుపుతుంది. అంటే పవర్‌హౌస్‌ని వెంటేసుకుని తిరుగుతున్నట్టు. కరెంటు ఇంజనుకు ఆ బరువు లేదు, పైనున్న తీగ నుంచి తీసుకుంటుంది.

1,500 వోల్టులకు లావు తీగలు, దగ్గర దగ్గర సబ్‌స్టేషన్లు కావాలి. అందుకే 1950ల చివర్లో మన రైల్వే ఫ్రాన్స్ అనుభవం చూసి 25,000 వోల్టుల ఏసీకి మారింది. వోల్టేజి పెరిగితే అదే పనికి ఆంపియర్లు తగ్గుతాయి, సన్న తీగ సరిపోద్ది. ఇంజను నెత్తి మీది పాంటోగ్రాఫ్ తీగను రాసుకుంటా కరెంటు తీసుకుంటుంది. లోపలి ట్రాన్స్‌ఫార్మర్ వోల్టేజి తగ్గిస్తుంది, మోటార్లు తిరుగుతాయి, కరెంటు పట్టాల మీదుగా వెనక్కి పోతుంది.

ఇప్పుడు అసలు మాట. ఈ తీగ ఆదివాసీ కొండల్లోకి మన పల్నాడు కంటే ఎంతో ముందే పోయింది. కొత్తవలస–కిరండూల్ లైను 1960లలో కట్టారు. బస్తర్‌లోని బైలదిల్లా కొండల ఇనుప ఖనిజం విశాఖ రేవుకు దించి జపాన్‌కు పంపడానికి. అరకు దగ్గర శిమిలిగుడ స్టేషన్ సముద్రమట్టానికి సుమారు 1,000 మీటర్ల ఎత్తులో ఉంది. 1980లలోనే ఆ లైనుకు కరెంటు వచ్చింది. ఖనిజం గూడ్సులు ఎన్నో, జనం ఎక్కే బండ్లు మాత్రం వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. తీగ బరువు కోసం వచ్చింది, కొండలో ఉండే మనిషి కోసం కాదు.

మన లైను మొదట గుంటూరు–మాచర్ల మీటరు గేజి. తర్వాత బీబీనగర్ నుంచి నడికుడికి బ్రాడ్ గేజి లైను కలిసింది, మనదీ బ్రాడ్ గేజి అయ్యింది. ఇక్కడ బొంబాయి రద్దీ లేదు, అరకు ఎక్కుడు లేదు. అందుకని చాలా ఏళ్లు డీజిలే. 2014 నాటికి దేశం మొత్తంలో కరెంటు లైను 22 వేల కిలోమీటర్లకు కాస్త తక్కువ. ఆ తర్వాత పని ఊపందుకుంది, ఆ ఊపులోనే మన నల్లపాడు–పగిడిపల్లి లైనుకూ తీగ పడింది. ఇప్పుడు దేశంలో బ్రాడ్ గేజి 95 శాతం పైనే కరెంటు మీద ఉంది.

పొగ లేదని అందరం సంతోషిస్తాం. కానీ మన దేశంలో కరెంటులో ఎక్కువ భాగం ఇంకా బొగ్గు నుంచే. ఆ బొగ్గు గనులు చాలావరకు కోయ, గోండు, సంతాల్ జనం ఉండే చోట్లే. పొగ పోలేదు, మన స్టేషన్ నుంచి వాళ్ల ఊరికి మారింది.

అట్లాగని రైలు వద్దంటామా? అనం. ఆవిరి కాలంలో మనల్ని బయటికి నెట్టారు. ఖనిజం కాలంలో మనవాళ్ల కొండ తీసుకున్నారు. ఈ కరెంటు కాలంలోనన్నా మనం ఇంజను లోపల ఉండాలి. అసిస్టెంట్ లోకో పైలట్‌కు పదో తరగతి మీద ఐటీఐ గానీ, డిప్లొమా గానీ కావాలి. ఎస్టీలకు 7.5 శాతం రిజర్వేషన్ ఉంది. గుంటూరు–బీబీనగర్ రెండో లైనుకు, 239 కిలోమీటర్లకు, 2023లో కేంద్రం ఒప్పుకుంది. తీగలు, సబ్‌స్టేషన్లు చూసుకునే పని ఇంకా పెరిగేదే. పది పాసై ఖాళీగా ఉన్న తమ్ముళ్లకు, చెల్లెళ్లకు ఎలక్ట్రీషియన్, ఫిట్టర్ ట్రేడుల గురించి చెప్పండి.

ఒక జాగ్రత్త కూడా చెప్పండి. ఆగి ఉన్న గూడ్సు పెట్టె ఎక్కి ఫొటోలు దిగొద్దు. 25,000 వోల్టుల తీగను ముట్టుకోనక్కర్లేదు, దగ్గరికి పోయినా లాగేస్తుంది.

చివరిగా, మీ ఇంట్లో ముసలివాళ్లను ఉప్పు మోసిన ఎద్దుల గురించి అడగండి. వాళ్లు చెప్పింది గ్రూపులో పెట్టండి. పరీక్ష పుస్తకాల్లో లేని చరిత్ర అది, మనమే రాసుకోవాలి.