పైకప్పు కింద ఆటలు: మన విశ్వవిద్యాలయ ప్రాంగణాల్లో ఇండోర్ స్టేడియం కథ

ప్రత్యేక సంచికకు ఏదైనా చరిత్ర వ్యాసం రాసి ఇవ్వమని సంఘ కార్యదర్శి గారు కోరారు. కోటల గురించీ, చెరువుల గురించీ మన మిత్రులు ఇదివరకే చక్కగా రాశారు. అందుచేత ఎవరూ అంతగా పట్టించుకోని ఇండోర్ స్టేడియం విషయం ఎత్తుకున్నాను. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన మాత్రమే కురిసే ఈ సీమలో సేద్యం, నీళ్లు, బ్రతుకు అన్నీ ఆకాశం మీదే ఆధారపడ్డాయి. ఆట ఒక్కటైనా ఆకాశంతో పని లేకుండా సాగే చోటు అది. కాబట్టి దాని పుట్టుపూర్వోత్తరాలు తెలుసుకోవడం మనకు అవసరమే.

వ్యాయామం మనకు కొత్త కాదు. 1520 ప్రాంతంలో విజయనగరానికి వచ్చిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పేస్, శ్రీకృష్ణదేవరాయల దినచర్యను వివరంగా రాసిపెట్టాడు. రాయలవారు తెల్లవారకముందే లేచి నువ్వులనూనె తాగి, అదే నూనె ఒంటికి పట్టించి, మట్టితో చేసిన పెద్ద బరువులు ఎత్తేవారట. ఆ తాగిన నూనె అంతా చెమటగా పోయేదాకా కత్తి సాము చేసి, తర్వాత ఒక మల్లుడితో కుస్తీ పట్టి, గుర్రపు స్వారీకి బయలుదేరేవారట. మహర్నవమి ఉత్సవాల్లో రాజు ఎదుట కుస్తీలు జరిగేవని కూడా పేస్ రాశాడు. ఆ రాయలవారి పేరే 1981లో అనంతపురం విశ్వవిద్యాలయానికి పెట్టారు. తర్వాతి కాలంలో మన ఊళ్లలో గరిడీలు, తాలింఖానాలు ఉండేవి. మెత్తటి మన్ను పోసిన గోదా, పైన ఒక కప్పు, మూలన ఆంజనేయస్వామి పటం. మన పాతకాలపు ఇండోర్ స్టేడియం అదేనని చెప్పుకోవచ్చు.

ఇప్పుడు మనం చూసే పద్ధతి హాలు మాత్రం మంచు దేశాల్లో పుట్టింది. 1891 డిసెంబరులో అమెరికాలోని స్ప్రింగ్‌ఫీల్డులో జేమ్స్ నైస్మిత్ అనే వ్యాయామోపాధ్యాయుడు, చలికి బయట ఆడలేక విసిగిపోయిన 18 మంది విద్యార్థుల కోసం ఒక కొత్త ఆట కల్పించాడు. పీచు పండ్ల బుట్టలు రెండు తెచ్చి హాలు గ్యాలరీ అంచుకు కొట్టించాడు. ఆ గ్యాలరీ ఎత్తు పది అడుగులు. నేటికీ ప్రపంచమంతటా బాస్కెట్‌బాల్ రింగు ఎత్తు అదే పది అడుగులు! నాలుగేళ్ల తర్వాత, 1895లో, ఆ పరిసరాల్లోనే విలియం మోర్గాన్ వాలీబాల్‌ను కనిపెట్టాడు. బాస్కెట్‌బాల్ పరుగులు తట్టుకోలేని పెద్ద వయసు వారి కోసం అతడు ఈ ఆటను రూపొందించాడని చరిత్ర చెబుతోంది. మన సంఘ సభ్యులు ఇది గుర్తుంచుకోదగ్గ సంగతి.

1920లో హ్యారీ క్రో బక్ మద్రాసులో వై.ఎం.సి.ఏ. వ్యాయామ విద్యా కళాశాల నెలకొల్పాడు. అప్పుడు మన జిల్లా మద్రాసు రాజధానిలోనిదే. అలా ఆటలు దక్షిణాదికి పాకాయి గానీ, వాటి వెంట హాళ్లు రాలేదు. 1916లో ప్రారంభమైన అనంతపురం ప్రభుత్వ కళాశాల కాలం నుంచీ, 1948లో గిండీ నుంచి తరలివచ్చిన ఇంజనీరింగు కళాశాల కాలం నుంచీ మన విద్యార్థులకు తెలిసిన మైదానం ఎర్రమట్టి నేలే. సున్నంతో గీతలు గీసి, నీళ్లు చల్లి ఆడేవారు.

ఇక్కడొక చిక్కు ఉంది. షటిల్ కాకు బరువు అయిదు గ్రాములు. మన మెట్ట గాలికి అది ఎటు పోతుందో కొట్టినవాడికే తెలియదు. రామగిరి కొండల మీద గాలిమరలు పెట్టి కరెంటు తీసిన జిల్లా మనది! అందుకే షటిల్ కంటే, తంజావూరులో పుట్టిన బాల్ బ్యాడ్మింటన్ మన వైపు ఆరుబయట ఆటకు బాగా కుదిరింది. ఉన్ని బంతి గాలికి లొంగదు. జట్టుకు అయిదుగురు కాబట్టి ఎక్కువ మందికి ఆడే అవకాశమూ దొరికేది. అయితే ఒలింపిక్స్‌లో ఉన్నది షటిల్. దాన్ని పైస్థాయిలో ఆడాలంటే గాలి చొరబడని హాలు తప్పదు. వేడికి గాలి పలచబడి కాకు మరింత దూరం పోతుంది. కనుక ఎండ ప్రాంతాల్లో నెమ్మదిగా సాగే రకం కాకులు ఎంచి వాడతారు.

మన ఉమ్మడి జిల్లాలో ఇలాంటి హాలుకు ప్రముఖ ఉదాహరణ పుట్టపర్తిలో ఉంది. అక్కడ 1981లో శ్రీ సత్యసాయి విశ్వవిద్యాలయం ఏర్పడింది. 1985లో కొండ వాలున హిల్ వ్యూ స్టేడియం వెలిసింది. ఏటా జనవరిలో విద్యార్థుల క్రీడోత్సవం అక్కడే జరుగుతుంది. 1997 డిసెంబరు 30న సచిన్ టెండూల్కర్ మొదలైన వారు ఆడిన యూనిటీ కప్ క్రికెట్ పోటీ కూడా ఆ స్టేడియంలోనే జరిగింది. అదంతా ఆరుబయటి ఆట. 2006లో విద్యాసంస్థల చెంతనే శ్రీ సత్యసాయి అంతర్జాతీయ క్రీడా కేంద్రం ప్రారంభమైంది. దీంతో బాస్కెట్‌బాల్, వాలీబాల్, షటిల్, టేబుల్ టెన్నిస్ వంటి ఆటలకు పెద్ద కప్పు కింద చోటు దొరికింది. 2022 ఏప్రిల్ 4న జిల్లాల విభజనతో పుట్టపర్తి కొత్త జిల్లాకు కేంద్రమైంది. అయినా మా తరం వారికి అది మన జిల్లా హాలే.

ఇండోర్ స్టేడియం అంటే పెద్ద షెడ్డు కాదు. షటిల్ కోర్టు పొడవు 13.4 మీటర్లు, వెడల్పు 6.1 మీటర్లు. బాస్కెట్‌బాల్ కోర్టు 28 మీటర్లు, 15 మీటర్లు. పెద్ద పోటీలకు షటిల్ కోర్టు మీద 12 మీటర్ల ఎత్తు వరకు దూలం గానీ దీపం గానీ అడ్డు రాకూడదు. మంచి హాలులో చెక్క నేలను సిమెంటు మీద నేరుగా పరచరు. కింద కొంత ఖాళీ ఉంచి పట్టీల మీద బిగిస్తారు. ఎగిరి దూకిన పిల్లవాడి మోకాలికి దెబ్బ తగలకుండా ఆ నేల కాస్త అణిగి లేస్తుంది. దానికి శత్రువులు మూడు: నీళ్లు, చెదలు, ఇనుప కుర్చీలు.

ఈ మూడోదాని గురించే ముఖ్యంగా మనవి చేయదలచాను. పెద్ద హాలు ఉన్నదంటే అందరి కన్నూ దాని మీదే. స్నాతకోత్సవం, ఉద్యోగాల పరీక్ష, మంత్రిగారి సభ, ఓట్ల లెక్కింపు అన్నీ అక్కడే. ఎన్నికల విభాగంలో పని చేసిన గుమాస్తాగా ఆ అవసరం నాకు బాగా తెలుసు. బ్యాలెట్ పేపర్ల రోజుల్లో లెక్కింపు ఒక పగలు, ఒక రాత్రి దాటి మరునాటికి పోయేది. తాళం, కాపలా, వెలుతురు, బల్లలకు చోటు ఉన్న కట్టడం దొరికితే అధికారులకు సగం పని అయినట్లే. ఆపద వచ్చినప్పుడు సంగతి వేరే చెప్పాలా? 2009 అక్టోబరులో కర్నూలును తుంగభద్ర ముంచెత్తినప్పుడు బాధితులకు బడులూ, కళాశాలలే నీడనిచ్చాయి. 2020లో కరోనా వేళ హైదరాబాదు గచ్చిబౌలి క్రీడా సముదాయంలోని బహుళ అంతస్తుల భవనం ఆస్పత్రిగా మారింది. ఆపదలో హాలు ఇవ్వవద్దని ఎవరూ అనరు, అనకూడదు.

కానీ ఆపద వేరు, సౌకర్యం వేరు. లెక్కింపు మూడు రోజులైతే, కంచెలు కట్టి విప్పడానికి మూడు వారాలు. ఒక కళాశాల హాలులో ఇనుప బల్లలు ఈడ్చిన గీతలు ఏళ్ల తరబడి అలాగే ఉండడం కళ్లారా చూశాను. ఈలోగా ఆడే పిల్లలు గేటు బయట. నెల రోజులు సాధన ఆగితే ఆటగాడికి ఏడాది వెనకబాటు. పుల్లెల గోపీచంద్ 2001లో ఆల్ ఇంగ్లండ్ టైటిల్ గెలిచాడన్నా, పి.వి. సింధు 2016 ఒలింపిక్స్‌లో రజతం తెచ్చిందన్నా, ఆ విజయాల వెనుక ప్రతి రోజూ తెల్లవారుజామున తలుపు తెరిచే హాళ్లు ఉన్నాయి. మన పిల్లల్లో సత్తా లేక కాదు. ఆ తలుపు దగ్గరలో లేకనే తల్లిదండ్రులు వారిని హైదరాబాదుకో, బెంగుళూరుకో పంపుతున్నారు.

కనుక మన సంఘం తరఫున నాలుగు మాటలు. విశ్వవిద్యాలయాల ఇండోర్ హాళ్లలో ఉదయం, సాయంత్రం ఆటల వేళలు ముందుగా నిర్ణయించి నోటీసు బోర్డులో పెట్టాలి. ఇతర పనులకు ఇచ్చేటప్పుడు నేల మీద మందపాటి పట్టా పరచాలనీ, పాడైతే ధరావతు నుంచి మినహాయిస్తామనీ షరతు రాయించుకోవాలి. వచ్చిన అద్దె హాలు మరమ్మతుకే ఖర్చు చేయాలి. ఊరి పిల్లలకు కొన్ని గంటలైనా ప్రవేశం ఉండాలి. ఈ మేరకు అధికారులకు ఒక వినతిపత్రం ఇద్దాం. ముసాయిదా రాయడానికి నేను సిద్ధం. సంతకాలు మీవి.

వాన మన చేతిలో లేదు. తలుపు తాళం మాత్రం మనుషుల చేతిలోనే ఉంది.